పాత కారు క్లచ్ స్లేవ్ సిలిండర్ మార్చడం ఎలా? బిగింపు అరగంట, గాలి తీయడమే అసలు పని

పాత కారులో క్లచ్ పెడల్ మెత్తబడగానే చాలామంది నేరుగా వెళ్లి, ఆయిల్ ఒత్తిడితో క్లచ్‌ను విడిపించే స్లేవ్ సిలిండర్‌ను కొత్తది కొనుక్కొస్తారు. దాన్ని బిగించి, పెడల్‌ను గంటసేపు ఎడాపెడా తొక్కి, అయినా గేరు పడకపోతే సామానే మంచిది రాలేదని తేల్చేస్తారు. ఇలా ‘పాడైపోయి వచ్చిన’ కొత్త సిలిండర్లు నా బల్ల మీదకు ఎన్నో వచ్చాయి. విప్పి చూస్తే దాదాపు అన్నింటిదీ ఒకటే జబ్బు: లోపల గాలి. సిలిండర్‌ను మార్చడం స్పానర్ పట్టుకోవడం వచ్చిన ఎవరైనా చేయగలరు. గాలి తీయడం దగ్గరే బోల్తా పడతారు.

మీ కారుది కేబుల్ క్లచ్ అయితే ఇదంతా అక్కర్లేదు, అందులో స్లేవ్ సిలిండరే ఉండదు. కొన్ని కార్లలో అది గేర్‌బాక్స్ గూటి లోపల, షాఫ్టు చుట్టూ కడియంలా కూర్చుని ఉంటుంది. దాన్ని మార్చాలంటే గేర్‌బాక్స్ దించక తప్పదు. ఇక్కడ చెబుతున్నది గూటి బయట రెండు బోల్టులతో బిగించి ఉండే రకం గురించి.

జబ్బు స్లేవ్‌దేనా?

పెడల్ తొక్కితే దాని వెనకున్న మాస్టర్ సిలిండర్ ఆయిల్‌ను (క్లచ్‌లోనూ సాధారణంగా బ్రేక్ ఆయిలే) పైపులోకి నెడుతుంది. ఆ ఆయిల్ స్లేవ్ సిలిండర్‌లోని పిస్టన్‌ను తోస్తుంది. పిస్టన్ ముందున్న పుష్ రాడ్ ఫోర్కును కదిలిస్తుంది, ఫోర్కు రిలీజ్ బేరింగును ప్రెషర్ ప్లేటు మీదకు నొక్కుతుంది. రాడ్ కదలాల్సినంత కదలకపోతే క్లచ్ పూర్తిగా విడవదు. అప్పుడు ముందుగా గొడవ చేసేది రివర్స్ గేరు. చాలా పాత గేర్‌బాక్సుల్లో రివర్స్‌కు సింక్రోమెష్, అంటే గేర్ల వేగాలను కలిపే ఏర్పాటు, ఉండదు కాబట్టి పళ్లు కరకరలాడతాయి. ఒకసారి తొక్కితే పడని గేరు మూడుసార్లు తొక్కితే పడటం, తొక్కిన పెడల్ సగంలో ఉండిపోవడం, పెడల్ పూర్తిగా తొక్కి పట్టుకున్నా బండి మెల్లగా ముందుకు పాకడం కూడా ఈ కోవలోవే.

ఇంజను మోత పెరుగుతున్నా బండి వేగం పెరగకపోతే అది పూర్తిగా వేరే జబ్బు. అక్కడ క్లచ్ విడవకపోవడం కాదు, జారుతోంది. ప్లేటు అరిగి జారుతున్న బండికి ఎన్ని స్లేవ్ సిలిండర్లు మార్చినా లాభం లేదు.

ఇప్పుడు చేతులకు పని చెప్పండి. బానెట్ ఎత్తి మాస్టర్ సిలిండర్‌కు ఆయిల్ అందించే డబ్బాలో మట్టం చూడండి. తర్వాత డ్రైవర్ కాళ్ల దగ్గర చాప తీసి, పెడల్ వెనక మాస్టర్ సిలిండర్ రాడ్ బయటికి వచ్చే చోట వేలితో తడమండి. అక్కడ తడి ఉంటే దోషం మాస్టర్‌ది. పొడిగా ఉంటే బండి కిందకు వెళ్లి స్లేవ్ సిలిండర్ చివరన ఉన్న రబ్బరు బూటు అంచును గోటితో పైకెత్తండి. సీలు పోయిన సిలిండర్ అయితే సిరాలా నల్లని చుక్క ఒకటి గోటి మీదుగా కారుతుంది. అది గేర్ ఆయిల్ అయ్యుండొచ్చన్న అనుమానం వస్తే వేళ్ల మధ్య రాసి, మీద నీళ్లు పోయండి. బ్రేక్ ఆయిల్‌ను పేరుకు ఆయిల్ అంటాం కానీ అది నూనె కాదు, గ్లైకాల్ జాతి ద్రవం. నీళ్లలో కలిసి ఇట్టే పోతుంది. గేర్ ఆయిల్ జిడ్డుగా అక్కడే ఉంటుంది, వాసన కూడా వేరు.

ఎక్కడా తడి లేకపోతే ఇంకొకరిని పెడల్ పూర్తిగా తొక్కి అలాగే పట్టుకోమనండి. మీరు స్కేలు పెట్టి రాడ్ కదలిక చూడండి. చాలా పాత కార్లలో కనీసం అర అంగుళం, అంటే 12, 13 మి.మీ. కదలాలి. మీ బండి కచ్చితమైన లెక్క మాన్యువల్‌లో ఉంటుంది. పెడల్ కదలకుండా ఉన్నా రాడ్ మెల్లగా వెనక్కి జారుతూ, బయట ఎక్కడా కారకపోతే తప్పు మాస్టర్‌దే. స్లేవ్‌లో సీలు దాటిన ఆయిల్‌కు బూటులోంచి బయటికి రావడం తప్ప మరో దారి లేదు. మాస్టర్ అయితే లోలోపలే సీలు దాటించి డబ్బాలోకి వదిలేయగలదు. ఈ ఒక్క పరీక్ష చేసి ఉంటే చాలామందికి అనవసరపు ఖర్చు తప్పేది.

హోసు పైపును క్లాంపుతో నొక్కిపెట్టి, పెడల్ గట్టిపడితే తప్పు స్లేవ్‌దని చెప్పే పద్ధతి ఒకటుంది. నేను చేయను, మీరూ చేయకండి. ముసలి రబ్బరును నొక్కితే లోపలి పొర చీలి ఆ ముక్క వాల్వులా అడ్డం పడుతుంది. అప్పుడు ఒక జబ్బు రెండవుతుంది.

ఏమేం కావాలి

కొత్త సిలిండర్, కొత్త హోసు పైపు, హోసును పట్టి ఉంచే బోలు బోల్టు (బాంజో బోల్టు) ఉంటే దానికి కొత్త రాగి వాషర్లు, సీలు తీయని బ్రేక్ ఆయిల్ సీసా. డబ్బా మూత మీద డాట్ 3 అనో డాట్ 4 అనో రాసి ఉంటుంది, అదే పోయండి. సిలికోన్ రకమైన డాట్ 5 ను వీటితో కలపకూడదు. ఇంజను ఆయిల్ ఒక్క చుక్క పడినా రబ్బరు సీళ్లు ఉబ్బిపోతాయి. మూత మీద మినరల్ ఆయిల్ అని ఉంటే మాత్రం అదే పోయాలి. పనిముట్లుగా రింగ్ స్పానర్లు, పైపు నట్టుకు ఫ్లేర్ స్పానర్, జాకీ, రెండు స్టాండ్లు, పెద్ద సిరంజి, నిపుల్‌కు (గాలి తీయడానికి సిలిండర్ మీద ఉండే చిన్న మర) గట్టిగా పట్టే పారదర్శకమైన గొట్టం చాలు. కంటికి అద్దాలు పెట్టుకోండి.

కొనేటప్పుడు బోరు కొలత సరిచూసుకోండి. ముప్పావు అంగుళం సిలిండర్ ఉండాల్సిన చోట 7/8 అంగుళంది బిగిస్తే బోల్టులు సరిపోతాయి, పెడల్ తేలికవుతుంది, అంతా బాగున్నట్టే ఉంటుంది. కానీ పిస్టన్ వైశాల్యం 36 శాతం పెరుగుతుంది కాబట్టి అదే ఆయిల్‌కు రాడ్ కదలిక నాలుగో వంతుకు పైగా తగ్గిపోతుంది. ఇక గేరు పడదు. పాత సిలిండర్ మీద పోత పోసిన అంకె చూసుకుని వెళ్లడం మేలు.

సీళ్ల కిట్ వేయడమా, కొత్తది కొనడమా? కొత్తదే. లోపలి గోడ మీద తుప్పు గుంట ఒక్కటున్నా కొత్త సీలు అంచు కొన్నాళ్లకే తెగుతుంది. కొత్తది దొరకనంత పాత బండి అయితే సిలిండర్‌కు స్టెయిన్‌లెస్ స్లీవు వేయించి అప్పుడు కిట్ వేయండి.

విప్పడం, బిగించడం

ముందు రోజే నిపుల్‌కూ పైపు నట్టుకూ తుప్పు వదిలించే ఆయిల్ కొట్టి ఉంచండి. బండిని స్టాండ్ల మీద నిలపండి, ఉత్త జాకీ మీద నమ్మకంతో కిందకు దూరకండి. పాత సిలిండర్ ఇంకా బిగించి ఉండగానే నిపుల్ వదులు చేసి, డబ్బాలో కొత్త ఆయిల్ పోస్తూ పాత మురికి ఆయిల్‌ను కిందకు కారిపోనివ్వండి. ఎందుకో తర్వాత చెబుతాను. డబ్బా ఎండనివ్వకండి.

శుభ్రమైన ఆయిల్ వచ్చాక హోసు నట్టును కొద్దిగా కదిలించి, సిలిండర్ రెండు బోల్టులూ తీసి, హోసును పూర్తిగా విప్పి, పైపు చివర మూత పెట్టండి. కొత్తది హోసుకు బిగించేటప్పుడు మొదటి మూడు నాలుగు చుట్లు వేళ్లతోనే తిప్పాలి. సిలిండర్ అల్యూమినియందైతే అడ్డమర పడిందంటే కొత్త సిలిండర్ చెత్తబుట్టకే. దాన్ని అప్పుడే గేర్‌బాక్స్‌కు బిగించకండి.

గాలి తీయడం

అందరూ చేసే పద్ధతి తెలిసిందే. ఒకరు లోపల కూర్చుని ధనాధన్ తొక్కుతారు, కింద ఉన్నవారు నిపుల్ తెరుస్తారు, మూస్తారు. బ్రేకులకు ఇది కొంత పనిచేస్తుంది. క్లచ్‌కు నిపుల్ మూసి తొక్కితే ప్రయోజనం సున్నా. పెడల్ వదలగానే ప్రెషర్ ప్లేటు స్ప్రింగు పిస్టన్‌ను వెనక్కి తోస్తుంది, ముందుకు వెళ్లిన ఆయిల్ అంతా బుడగతో సహా వచ్చిన దారినే వెనక్కి పోతుంది. బుడగ పైపులో అటూ ఇటూ ఊగుతుంది తప్ప బయటికి రాదు. పైగా వేగంగా తొక్కితే ఒక పెద్ద బుడగ వంద చిన్న బుడగలై నురగ కడుతుంది. ఆ దశకు వస్తే పని ఆపి ఒక గంట వదిలేయడం తప్ప దారి లేదు.

నిపుల్‌కు వ్యాక్యూమ్ పంపు తగిలించి లాగేవాళ్లూ ఉన్నారు. లాగుతున్నంతసేపూ గొట్టంలో బుడగలు వస్తూనే ఉంటాయి. అవి సిస్టంలోవి కావు, నిపుల్ మరల సందులోంచి బయటి గాలి వస్తోంది. రెండు సీసాల ఆయిల్ ఖాళీ చేశాక గానీ ఆ సంగతి తెలియదు.

గాలి సహజంగా పైకి పోతుంది. దాన్ని కిందకు నెట్టడం ఎందుకు? ఆయిల్‌ను కింద నుంచి పైకి పంపితే బుడగ దానంతటదే డబ్బాలోకి చేరుతుంది.

మొదట సిలిండర్‌ను చేత్తో పట్టుకుని నిపుల్ అన్నింటికన్నా ఎత్తున, బూటు చివర కాస్త కిందకు ఉండేలా వంచండి. చాలా కార్లలో సిలిండర్ బిగించి ఉన్నప్పుడు నిపుల్ అసలు పైభాగంలోనే ఉండదు, పిస్టన్ దగ్గర ఒక మూల గాలి చిక్కుకుంటుంది. అందుకే బిగించవద్దన్నాను. పిస్టన్‌ను పూర్తిగా లోపలికి నొక్కి, సిలిండర్‌కు అడ్డంగా చెక్క ముక్క పెట్టి తీగతో కట్టేయండి. లోపల ఖాళీ లేకపోతే గాలికి చోటుండదు. ఈ కట్టు మరో రకంగానూ అవసరం. ఒకసారి నేను కట్టకుండా వదిలేసిన సమయంలోనే పైన ఉన్న కుర్రాడు పెడల్ తొక్కాడు. పిస్టన్ ఎగిరి గోడకు తగిలింది, ఆయిల్ ఫెండర్ మీద చిమ్మింది. వెంటనే నీళ్లు పోశాను, అయినా బొటనవేలంత మేర రంగు ముడతలు పడింది.

ఇప్పుడు డబ్బాలోంచి మూడింట రెండు వంతుల ఆయిల్ సిరంజితో తీసేయండి, కింద నుంచి వచ్చేదానికి చోటు కావాలి. చాలా కార్లలో బ్రేకులకూ క్లచ్‌కూ డబ్బా ఒకటే. మురికి పైకి వెళ్తే అది బ్రేకుల్లోకే చేరుతుంది. పాత ఆయిల్‌ను ముందే కిందకు వదిలించింది ఇందుకే. డబ్బా చుట్టూ గుడ్డ కట్టండి.

క్లచ్ పెడల్ పూర్తిగా పైకి వచ్చి ఉందో లేదో కూర్చుని చూసుకోండి. ఈ ఒక్కటి మరిచిపోయే చాలామంది ఈ పద్ధతి పనిచేయదంటారు. మాస్టర్ సిలిండర్‌లో డబ్బాకు దారి ఇచ్చే చిన్న రంధ్రం పెడల్ పూర్తిగా పైన ఉన్నప్పుడే తెరుచుకుని ఉంటుంది. కాళ్ల కింది చాప అడ్డం పడి పెడల్ కొంచెం దిగి ఉన్నా రంధ్రం మూసుకుపోతుంది. అప్పుడు సిరంజి కదలదు. బలవంతంగా నొక్కితే గొట్టం ఊడి ఆయిల్ ముఖాన కొడుతుంది.

కొత్త ఆయిల్ సిరంజిలో నింపి, గొట్టం చివర దాకా ఆయిల్ వచ్చేట్టు చూసి, నిపుల్‌కు తగిలించండి. నిపుల్ అర చుట్టు తెరిచి మెల్లగా నొక్కండి. మరల సందులోంచి కొంచెం కారినా ఫరవాలేదు, ఒత్తిడి లోపలి నుంచి బయటికి ఉంది కాబట్టి గాలి లోపలికి రాదు. డబ్బా దగ్గర ఒకరుంటే మంచిది. మొదట గుడగుడమని పెద్ద బుడగలు, తర్వాత సన్నవి వస్తాయి. డబ్బా నిండబోతే ఆపి, తోడి, మళ్లీ నొక్కండి. సిరంజి ఖాళీ అయ్యేలోపే, బొటనవేలు నొక్కుతూ ఉండగానే నిపుల్ మూయాలి. తోడిన ఆయిల్‌ను మళ్లీ పోయకండి. వరుసగా రెండు సిరంజిలకు ఒక్క బుడగా రాకపోతే అప్పుడు నమ్మండి.

నిపుల్ లోపల బోలుగా ఉంటుంది, పొట్టి స్పానర్‌తో మణికట్టు బలం చాలు. అంతకు మించితే విరిగి సగం లోపలే ఉండిపోతుంది.

చివరగా చెక్క ముక్క తీసి, పిస్టన్‌ను చేత్తో కొద్దిగా బయటికి రానిచ్చి మెల్లగా లోపలికి నొక్కండి. నాలుగైదు సార్లు ఇలా చేస్తే పైపు మెలికలో దాక్కున్న బుడగ ఏదైనా ఉంటే డబ్బాలో తేలుతుంది.

బిగించాక

రాడ్ చివర ఫోర్కు గుంటలో కూర్చుందని వేలితో తడిమి చూసుకుని సిలిండర్ బోల్టులు బిగించండి. గుంటలోకి కాస్త గ్రీజు పెట్టండి. రాడ్ పొడవు సవరించే నట్టు ఉంటే మాన్యువల్ చెప్పినంత వదులు ఉంచాలి, లేకపోతే బేరింగు ఎప్పుడూ రుద్దుకుంటూ తొందరగా అరుగుతుంది. డబ్బాను గీత వరకు నింపి మూత పెట్టండి. పెడల్ తొక్కి రాడ్ కదలిక మళ్లీ కొలవండి. ఇంజను నడుస్తుండగా క్లచ్ తొక్కి, మూడు అంకెలు లెక్కపెట్టి రివర్స్ వేయండి. చప్పుడు లేకుండా పడాలి. బండి చుట్టూ కారిన ఆయిల్‌ను సబ్బు నీళ్లతో కడిగేయండి.

మర్నాడు ఉదయం ఇంజను స్టార్ట్ చేయకముందే బండి కిందకు వెళ్లి బూటు అంచును మళ్లీ గోటితో ఎత్తి చూడండి. పొడిగా ఉంటే నిపుల్‌కు రబ్బరు టోపీ తొడిగేయండి. తడిగా ఉంటే రాగి వాషర్ దగ్గర మొదలుపెట్టండి, సిలిండర్‌ను అనుమానించడం ఆ తర్వాత.