అరుదైన ఇంగ్లీషు విశేషణాలు, 12వ పాఠం: రైపేరియన్

పోయిన పాఠంలో లిటోరల్ (సముద్రపు ఒడ్డుకో సరస్సు ఒడ్డుకో చెందిన) గురించి చెప్పి, మీ ఊరి మీద ఒక్క ఇంగ్లీషు వాక్యం రాసి పంపమన్నాను. కాకినాడ, ఓడలరేవు, అంతర్వేది వాళ్లు బాగానే రాశారు. వాళ్ల ఇళ్లకు సముద్రపు గాలి తగులుతుంది కాబట్టి తప్పు రాసే అవకాశం తక్కువ. తక్కినవాళ్ల సంగతే చెప్పాలి. 'కోటిపల్లి ఈజ్ ఎ లిటోరల్ విలేజ్' అన్నారు. రావులపాలెం, సిద్ధాంతం, రాజమహేంద్రవరం అన్నీ లిటోరల్ అయిపోయాయి. ఒకాయనైతే ధవళేశ్వరం బ్యారేజీని కూడా వదల్లేదు.

ఎక్కడ జారారో తెలుస్తూనే ఉంది. మనకు తీరం ఒక్కటే. సముద్ర తీరం అంటాం, గోదావరి తీరం అంటాం, చెరువు అయితే గట్టు అంటాం. నిఘంటువులో లిటోరల్ ఎదురుగా 'తీరానికి సంబంధించిన' అని కనబడగానే చటుక్కున గోదావరి గుర్తొస్తుంది. మన ప్రాంతంలో ఇంకేం గుర్తొస్తుంది! కానీ ఇంగ్లీషు ఈ రెండింటినీ విడదీసింది. సముద్రపు ఒడ్డు, సరస్సు ఒడ్డు అయితే లిటోరల్. ఏటి ఒడ్డు అయితే రైపేరియన్. కోటిపల్లి గౌతమి ఒడ్డున ఉంది కనుక రైపేరియన్ విలేజ్. ఈ వారం ఎస్ట్యురైన్ (నది సముద్రంలో కలిసే చోటుకు చెందిన) చెబుదామనుకున్నాను. ఈ చిక్కు తీరకుండా అక్కడికి వెళితే మూడూ కలగాపులగం అవుతాయి కాబట్టి దాన్ని వెనక్కి జరిపాను.

స్పెల్లింగ్: ఆర్, ఐ, పి, ఏ, ఆర్, ఐ, ఏ, ఎన్. నేను గుర్తుపెట్టుకునే పద్ధతి ఇది. ఆర్, ఐ, ఏ రెండేసి సార్లు వస్తాయి, పి, ఎన్ ఒక్కోసారే. రెండు పీలు రాశారంటే లెక్క తప్పినట్టే.

పలకడం రెండు రకాలుగానూ ఉంది: రైపేరియన్, రిపేరియన్. నిఘంటువులు రెండూ ఒప్పుకుంటాయి. నేను మాత్రం మొదటిదే పలకమంటాను. రిపేరు మన తెలుగు ఇళ్లలో ఎప్పుడో స్థిరపడిపోయిన మాట. 'రిపేరియన్ వర్క్స్' అని వింటే ఏటిగట్టుకు మరమ్మతులు చేస్తున్నారనే అనిపిస్తుంది. అలా అనుకుని వాక్యం రాసిన విద్యార్థులూ ఉన్నారు. రిపేరుకూ దీనికీ ఏ చుట్టరికమూ లేదు.

దీని అసలు చుట్టాలు వేరు. లాటిన్‌లో రిపా అంటే ఒడ్డు. ఒడ్డుకు చేరడం నుంచి అరైవ్ వచ్చింది. రివర్ కూడా పాత ఫ్రెంచి మీదుగా ఈ రిపా నుంచి వచ్చిందే. అంటే ఇంగ్లీషువాడి నది పేరులో ఉన్నది ఒడ్డు, నీళ్లు కావు. ఒడ్డు మట్టిలో బొరియలు తవ్వి గూడు కట్టుకునే ఒక పిట్టకు శాస్త్రవేత్తలు రైపేరియా రైపేరియా అని పేరు పెట్టారు. రైవల్ మాత్రం ఈ ఇంటిది కాదు. అది వాగు అనే అర్థమున్న మరో లాటిన్ మాట నుంచి వచ్చింది. ఒకే వాగు నీళ్లు వాడుకునేవాళ్లు రైవల్స్. వంతు దగ్గర గొడవపడ్డ రైతులకు ఈ అర్థం వివరించనక్కర్లేదు.

వ్యాకరణం కొంచెమే. ఇది ఎక్కువగా నామవాచకానికి ముందు వస్తుంది: రైపేరియన్ ల్యాండ్, రైపేరియన్ రైట్స్, రైపేరియన్ స్టేట్. మోర్ రైపేరియన్, వెరీ రైపేరియన్ అనరు. ఒడ్డున ఉంటే ఉన్నట్టు, లేకపోతే లేనట్టు. కోర్టు భాషలో 'ల్యాండ్ రైపేరియన్ టు ది స్ట్రీమ్' అని టు పెట్టి కూడా రాస్తారు. ఒడ్డున భూమి ఉన్న మనిషిని ఎ రైపేరియన్ అనవచ్చు, అప్పుడది నామవాచకం. ఒడ్డుకే తప్ప నీళ్లలో ఉండేవాటికి ఈ మాట తగిలించకండి. రైపేరియన్ పులస అని రాస్తే పులస గట్టెక్కి కూర్చున్నట్టు ఉంటుంది. చేపకు, పడవకు, ప్రవాహానికి రివరైన్ (నదికి సంబంధించిన) చాలు.

మీరు పేపర్లో ఈ మాట చూసేది ఎక్కువగా నీటి తగాదాల వార్తల్లో. తెలుగు పేపర్లు ఎగువ రాష్ట్రం, దిగువ రాష్ట్రం అంటాయి. ఇంగ్లీషు పేపర్లు అప్పర్ రైపేరియన్, లోయర్ రైపేరియన్ అంటాయి. గోదావరి నాసిక్ దగ్గర త్ర్యంబకంలో పుట్టి 1,465 కిలోమీటర్లు నడిచి మన దగ్గర సముద్రంలో కలుస్తుంది కనుక మహారాష్ట్ర అప్పర్ రైపేరియన్, మనం లోయర్ రైపేరియన్. ఈ నీళ్ల పంపకానికి 1969లో జస్టిస్ బచావత్ అధ్యక్షతన ట్రైబ్యునల్ వేశారు, 1980లో అవార్డు, అంటే దాని తీర్పు, వచ్చింది. అందులో మహారాష్ట్ర, కర్ణాటక, మధ్యప్రదేశ్, ఒడిశా, అప్పటి ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ పార్టీలు, అంటే కక్షిదారులు. వాటిని ఒకదానికొకటి కో రైపేరియన్ స్టేట్స్ అంటారు. యానాం గౌతమి ఒడ్డునే ఉంది కాబట్టి భూగోళం లెక్కన పుదుచ్చేరికి కూడా ఈ మాట అతుకుతుంది, పార్టీల జాబితాలో మాత్రం దాని పేరు లేదు. కావేరి దగ్గర అలా కాదు, ఆ నది డెల్టాలో తనకున్న కారైకాల్ పుణ్యమా అని పుదుచ్చేరి అక్కడ పార్టీ అయింది.

ఈ మాటకు నాన్ తగిలిస్తే ఎంత గొడవవుతుందో చూడాలంటే పంజాబ్ వైపు చూడండి. రాజస్థాన్ నాన్ రైపేరియన్ స్టేట్, మా నదులు దాని నేల మీదుగా పారవు, దానికి వాటా ఎక్కడిది అన్నది పంజాబ్ దశాబ్దాలుగా చేస్తున్న వాదన. విశేషణమే కదా అని తేలిగ్గా తీసుకునేవాళ్ల కోసం ఈ ఉదాహరణ.

ఇక అసలు తలనొప్పి. ఈ మాట నేర్పిన ప్రతిసారీ డెల్టాలో ఒకే ప్రశ్న వస్తుంది. 'మాస్టారూ, మా ఇల్లు కాలువ గట్టు మీదే కదండీ, మేం రైపేరియనే కదా?'

కాదండీ.

పాలకొల్లులో వీధి చివర కాలువ ఉంటుంది, మెట్లు దిగితే నీళ్లు తగులుతాయి, అయినా కాదు. లాకుల దగ్గర క్వార్టర్స్‌లో ఉన్నవాళ్లు పొద్దున లేవగానే చూసేది నీళ్లనే, అయినా కాదు. శివారు భూముల రైతు నీళ్ల కోసం రాత్రంతా కాలువ గట్టు మీదే కాపలా ఉంటాడు. ఆయన కష్టం నిజమే, కానీ దాని పేరు రైపేరియన్ కాదు. చేపల చెరువు గట్టు సంగతి అసలు అడగనే వద్దు.

కారణం చట్టంలో ఉంది. 1882 నాటి ఈజ్‌మెంట్స్ (ఇతరుల భూమి మీద ఉండే వాడుక హక్కుల) చట్టం మొదట అమలైన ప్రాంతాల్లో మద్రాసు ప్రెసిడెన్సీ ఒకటి, అంటే అప్పటి గోదావరి జిల్లా కూడా అందులోదే. దాని ఏడో సెక్షన్ ఉదాహరణల్లో ఈ హక్కు సంగతి ఉంది. సహజంగా పారే వాగునో, సరస్సునో, చెరువునో ఆనుకుని భూమి ఉన్న ప్రతి యజమానీ తాగడానికి, ఇంటి అవసరాలకు, పశువులకు ఆ నీళ్లు వాడుకోవచ్చు. ఆ భూమిని తడుపుకోవచ్చు కూడా, అయితే అలాంటి హక్కే ఉన్న తక్కినవాళ్లకు చెప్పుకోదగ్గ నష్టం కలగకూడదు. ఇందులో ముఖ్యమైన మాట సహజంగా. ఆ ఒడ్డు ప్రకృతి ఇచ్చింది, హక్కు ఆ ఒడ్డుతోపాటు వచ్చింది. ప్రభుత్వం నదుల నీటిని నియంత్రించే అధికారం జోలికి వెళ్లనని అదే చట్టం రెండో సెక్షన్‌లో చెప్పింది, అది వేరే సంగతి.

మన కాలువలు ప్రకృతి ఇచ్చినవి కావు. కాటన్ దొర 1847లో ధవళేశ్వరం ఆనకట్ట పని మొదలుపెట్టాడు, 1852కి అది పూర్తయింది. ఆ ఆనకట్ట వల్లే ఈ కాలువలకు నీళ్లు పారాయి, ఇప్పుడు దాని స్థానంలో కట్టిన బ్యారేజీ వల్ల పారుతున్నాయి. షట్టర్ ఎత్తితే వస్తాయి, దించితే ఆగుతాయి. అందుకే మీరు నీటి తీరువా కడతారు. మీది కమాండ్ ఏరియా, అంటే ఆయకట్టు. హక్కు లేదని కాదు, ఆ హక్కు వచ్చిన దారి వేరు. ఆయకట్టు రైతును రైపేరియన్ ఫార్మర్ అని రాస్తే చదివే లాయరు ఆయన పొలం గోదావరి ఒడ్డునే ఉందనుకుంటాడు. అర్జీ ఇంగ్లీషులో రాసేవాళ్లు ఇక్కడ జాగ్రత్తగా ఉండాలి.

చెట్లూ పక్షుల గురించి రాసేవాళ్లు కాలువ గట్టు చెట్లకు కూడా అప్పుడప్పుడు ఈ మాట వాడేస్తుంటారు. నాకు నచ్చదు గానీ, వాళ్ల రంగంలో అది చెల్లుతుంది. అలాగే కొందరు సరస్సు ఒడ్డుకూ రైపేరియన్ అంటారు. మీరు మాత్రం ఏటికే ఉంచుకోండి.

మరి తుల్యభాగ లాంటిదో? సప్త గోదావరుల్లో ఒకటిగా మనవాళ్లు చెప్పుకునే పాయ, ఇప్పుడు మురుగు కాలువల లెక్కలో ఉంది. సహజంగా ఏర్పడ్డ దారే అయితే దాని ఒడ్డుకు ఈ మాట వాడవచ్చనే నేనంటాను. పేరు చివర డ్రైన్ అని ఉన్నంత మాత్రాన భయపడకండి. ఆ దారిని ఎవరు తవ్వారన్నదే చూడాలి.

ఏటిగట్టు దగ్గర ఇంకో మెలిక ఉంది. వరద ఆపడానికి కట్టిన గట్టుకు ఇవతల మీ ఇల్లు ఉందనుకోండి. డాబా ఎక్కితే గోదావరి కనబడుతుంది, మూడో ప్రమాద హెచ్చరిక ఎగరేస్తే టెన్షన్ అంతా మీదే. అయినా మీ స్థలానికీ నీటికీ మధ్య గట్టు ఉంది, గట్టవతల ఇంకొకరి నేల ఉంది. చట్టం లెక్కలో మీ హద్దు ఏటిని తాకాలి. కథలోనో వ్యాసంలోనో అయితే 'ఎ రైపేరియన్ హౌస్' అని రాసుకోండి, ఎవరూ తప్పుపట్టరు.

లంకలకు ఈ గొడవే లేదు. గౌతమి, వసిష్ఠ, వైనతేయ పాయల మధ్య ఉన్న లంకకు ఎటు చూసినా ఒడ్డే. అక్కడి రెల్లు దుబ్బులు రైపేరియన్ వెజిటేషన్. వాటి వేర్లు మట్టిని పట్టి ఉంచుతాయి, పొలం ఎరువు నేరుగా ఏట్లో కలవకుండా కొంత ఆపుతాయి. అలాంటి పట్టీని కావాలని పెంచితే రైపేరియన్ బఫర్ అంటారు. అది కొట్టేసిన చోట కోత ఎక్కువవుతుందని లంక రైతుకు ఏ పుస్తకమూ చెప్పనక్కర్లేదు. ఒడ్డు కొద్దికొద్దిగా మేట వేసి పెరిగితే కొత్త నేల రైపేరియన్ ఓనర్‌దేనని, ఒక్క వరదలో ఏరు దారి మార్చేసుకుంటే పాత హద్దు మారదని ఇంగ్లీషు కామన్ లా సూత్రం. మన లంక భూములకు ప్రభుత్వ నిబంధనలు వేరే ఉన్నాయి. ఇది చదివి ఎవరూ సర్వేయరును పిలవకండి.

అభ్యాసం

ఈసారి ఒక్క వాక్యంతో సరిపెట్టను. కోత వల్ల అర ఎకరం పోగొట్టుకున్న ఒక లంక రైతు తరఫున కలెక్టరుకు ఇంగ్లీషులో పది వాక్యాల అర్జీ రాయండి. రైపేరియన్ విశేషణంగా మూడుసార్లు, నామవాచకంగా ఒకసారి రావాలి. రివర్ అన్న మాట ఒక్కసారి కూడా రాకూడదు. బ్యాంక్, స్ట్రీమ్, ఛానల్ వాడుకోవచ్చు. ఆ రైతుకే గట్టుకు ఇవతల కాలువ కింద ఇంకో ఎకరం ఉన్నట్టు ఒక వాక్యంలో చెప్పాలి, ఆ వాక్యంలో రైపేరియన్ కనబడిందా, అర్జీ వెనక్కి పంపేస్తాను.

లిటోరల్ తప్పు రాసినవాళ్లు అదే వాక్యాన్ని దిద్ది దీని కింద జతచేయండి. ధవళేశ్వరం ఆయన మాత్రం రెండు వాక్యాలు పంపాలి, ఒకటి బ్యారేజీ మీద, ఒకటి దాని ఎగువన ఉన్న ఒడ్డు మీద.