కల్పిత గ్రంథాన్ని పుట్టించడం – 4వ పాఠం: ఆకు పోయిన చోటే కథ

ఈసారి మీ గ్రంథానికి లిపి ఎలా తయారుచేయాలో చెబుదామనుకున్నాను, కానీ పోయిన పాఠానికి మీరు పంపిన అభ్యాసాలు చదివాక అది పక్కన పెట్టేశాను. మీ ఫాంటసీ లోకంలోని మాంత్రిక గ్రంథం గురించి ఒక పేజీ రాయమన్నాను కదా, సగానికి పైగా ఆ గ్రంథాన్నే రాసి పంపారు. మంత్రాలు, సీసపద్యాలు, భవిష్యవాణి, ఒకరైతే ఏకంగా మూడు అధ్యాయాలు. కష్టపడ్డారు, కాదనను. కానీ చదివినంతసేపూ నాకు భయం పెరగాల్సింది పోయి తగ్గింది. లోపల ఏముందో మొత్తం తెలిసిపోయిన పుస్తకానికి ఇక ఎవరు భయపడతారు?

అమెరికన్ రచయిత లవ్‌క్రాఫ్ట్ నెక్రోనోమికాన్ అనే మాంత్రిక గ్రంథాన్ని ఎలా కల్పించాడో చూడండి. 1922లో రాసిన ఒక కథలో మొదటిసారి ఆ పేరు వస్తుంది. ఆ తర్వాత కథల్లో అక్కడక్కడా ఒక వాక్యం, మహా అయితే ఒక పేరా. పుస్తకాన్ని ఎప్పుడూ రాయలేదు, ఎవరైనా రాస్తే ఇన్నాళ్లూ దాని పేరుకే వణికినవాళ్లు నిరాశపడతారని ఒక ఉత్తరంలో అన్నాడు కూడా. 1927లో అతను రాసుకున్నది ఆ పుస్తకం చరిత్ర మాత్రమే, కొద్ది పేజీల్లో. 730 ప్రాంతంలో డమాస్కస్‌లో అరబ్బీలో పుట్టింది, 950లో గ్రీకులోకి వెళ్లింది, 1050లో తగలబెట్టారు, 1228లో లాటిన్‌లోకి వచ్చింది, 1232లో పోప్ నిషేధించాడు, అరబ్బీ మూలం అప్పటికే దొరకడం లేదు. గమనించారా, ప్రతి మెట్టు మీదా ఏదో ఒకటి పోతూనే ఉంది.

1928లో రాసిన ఇంకో కథలో ఒకడి దగ్గర ఆ పుస్తకం ఇంగ్లీషు ప్రతి ఉంటుంది, కానీ లోపాలున్న ప్రతి. అందులో 751వ పేజీలో ఉండాల్సిన భాగం వాడికి కావాలి. దాని కోసమే లాటిన్ ప్రతి ఉన్న లైబ్రరీకి వస్తాడు, అక్కడి నుంచి కథ పట్టాలెక్కుతుంది. మంత్రం ఉండటం వల్ల కాదు, ఒక పేజీ లేకపోవడం వల్ల. ఈ ఒక్క ముక్క పట్టుకుంటే ఈ పాఠంలో మీకు కావాల్సింది దొరికినట్టే.

1937లో లవ్‌క్రాఫ్ట్ పోయాక కూడా ఆ పుస్తకం ఆగలేదు. లైబ్రరీ క్యాటలాగుల్లో కొందరు దానికి దొంగ కార్డులు పెట్టారు, 1977లో న్యూయార్క్‌లో అదే పేరుతో అసలుదన్నట్టుగా ఒక పుస్తకం అచ్చయింది. లవ్‌క్రాఫ్ట్ తన కల్పనలో నిజమైన పేర్లు కలిపాడు కాబట్టి జనం నమ్మారు. లాటిన్ అనువాదకుడిగా పెట్టిన ఓలావుస్ వర్మియస్ నిజానికి 17వ శతాబ్దపు డేనిష్ వైద్యుడు, నాలుగు వందల ఏళ్లు వెనక్కి జరిగిపోయాడు. అయినా నమ్మారు.

ఇప్పుడు నన్ను బాగా విసిగించిన విషయం. "అయిదు వేల ఏళ్ల నాటి తాళపత్రం", "పదివేల ఏళ్లుగా గుహలో భద్రంగా ఉన్న తాళపత్రం". దయచేసి ఇది మానేయండి. తాటాకు అంటే ఆకే. మన ఉక్కపోతలో, చెదలూ రామబాణం పురుగులూ ఉన్న చోట కొన్ని వందల ఏళ్లు నిలిస్తే అదే గొప్ప. నేపాల్ లాంటి చల్లటి చోట వెయ్యేళ్లు దాటినవి ఉన్నాయి, అంతకు మించి ఆశించకండి. మాయతో కాపాడాం అంటారా? అలా అనగానే మీరు చేతిలో ఉన్న అసలు ఐశ్వర్యాన్ని పారేసుకున్నట్టు. ఆకు పాడవుతుంది కాబట్టే ఎవరో ఒకరు కూర్చుని, గంటం పట్టి, కొత్త ఆకుల మీద మళ్లీ గీయాలి. గీసిన వెంటనే అక్షరం సరిగా కనపడదు, మసి రాస్తేనే నల్లగా తేలుతుంది. ఆ ఎత్తి రాసేవాడికి కళ్లు మసకబారతాయి, నిద్ర వస్తుంది, ఒక వరస దాటేస్తాడు. "యాదృశం పుస్తకం దృష్ట్వా తాదృశం లిఖితం మయా" అని చివర రాసుకునేది అందుకే, ఎలా చూశానో అలాగే రాశాను, తప్పుంటే దోషం నాది కాదు అని. మీ గ్రంథం వయసు అయిదు వేల ఏళ్లయితే అలాంటి వాళ్లు ఎంతమంది మారి ఉంటారో లెక్కేయండి. వాళ్లే మీ పాత్రలు.

ఒక ఉదాహరణ. మూలంలో "మంట ఆరిన రాత్రి తలుపు తెరవండి" అని ఉంది. నాలుగో లేఖకుడు మ బదులు ప రాశాడు. "పంట ఆరిన రాత్రి తలుపు తెరవండి." ఇప్పుడు ఒక శాఖ వాళ్లు హోమగుండం చల్లారే దాకా కాచుకుంటారు, ఇంకో శాఖ వాళ్లు కుప్ప నూర్చిన రాత్రి కళ్లంలో తలుపు కోసం వెతుకుతారు. రెండు వందల ఏళ్ల శత్రుత్వానికి ఒక్క అక్షరం చాలు.

మన దగ్గర మరీ పెద్ద ఉదాహరణ పోతన భాగవతమే. శిథిలమైన భాగాలను గంగన, సింగన, నారయ పూరించారని చెబుతారు, ఏ స్కంధం ఎవరిదో, రాసినవాడు తన పేరు చెప్పుకునే చివరి గద్యమే పట్టిస్తుంది. నేనైతే ఎప్పుడూ ఆ చివరి గద్యంతోనే మొదలుపెడతాను. ఎవరు, ఎక్కడ, ఎవరి కోసం, ఏది చూసి ఎత్తి రాశారు. లోపలి పద్యం అవసరమైతే తర్వాత, రెండు పాదాలు.

అభ్యాసం, ఈసారి తేలిక కాదు. మీ గ్రంథం నుంచి ఎనిమిది వరసలు చేత్తో రాయండి, కంప్యూటర్ వద్దు. రాత్రి భోజనం అయ్యాక మసక వెలుతురులో దాన్ని చూసి ఎత్తి రాయండి. ఆ ప్రతిని ఇంకొకరికి ఇవ్వండి, వాళ్లు రాసింది మరొకరికి, అలా మీతో కలిపి నలుగురు. అసలు ప్రతి ఎవరికీ చూపించొద్దు. మూడో ప్రతిలో ఒక మూల చింపేయండి, నాలుగో వ్యక్తి ఆ ఖాళీని తనకు తోచినట్టు పూరించాలి. ప్రతి ఒక్కరూ చివర తమ గద్యం రాయాలి. అయిదు ప్రతులూ పక్కపక్కన పెట్టి, ఏ తేడా దగ్గర రెండు వర్గాలు విడిపోతాయో వెతికి, నాకు ఆ తేడా ఒక్కటే పంపండి. గ్రంథం పంపొద్దు.