ఇంగ్లిష్ క్లబ్బుల వెనకాల బీరు కథ తవ్వడం ఎలా: చొక్కా వదిలేయండి, స్థలం ఎవరిదో చూడండి

శనివారం రాత్రి బెంగళూరు ఇందిరానగర్‌లో ఏదో ఒక పబ్బులో ఇంగ్లండ్ ఫుట్‌బాల్ ప్రీమియర్ లీగ్ మ్యాచ్ చూడ్డం మా బ్యాచ్‌కి అలవాటు. అక్టోబర్ చివర్నుంచి మార్చి చివరిదాకా మనకి 8:30కి మొదలవుద్ది, మిగతా నెలల్లో 7:30కి, అక్కడేమో మధ్యాహ్నం మూడు. ముగ్గురు బీరు తాగుతారు, నేను లైమ్ సోడా, బిల్లు మాత్రం నాలుగు భాగాలే, అది వేరే గొడవ. ఒకసారి లివర్‌పూల్, మాంచెస్టర్ యునైటెడ్ మ్యాచ్ నడుస్తుంటే నేను "మావా, ఈ రెండు టీములూ బీరు కంపెనీ వాళ్ళ డబ్బుతోనే నిలబడ్డాయి తెల్సా" అన్నాను, ఒక్కడూ నమ్మలేదు, ప్లేట్ చిల్లీ చికెన్ పందెం, గెలిచాను. అప్పట్నుంచి వారానికో క్లబ్బు పట్టుకుని దాని బీరు చరిత్ర తవ్వడం నాకో పిచ్చి అయిపోయింది. ఎలా తవ్వుతానో రాయమని మావాళ్ళు అడిగితే ఇది.

మొదట ఒక్క మాట. అందరూ జెర్సీ మీద ఏ బీరు పేరుందో చూసి అక్కడే ఆగిపోతారు. అది యాడ్ డబ్బు, మొన్నమొన్నటి విషయం. అసలు కథ నేలలో ఉంది. మాది భీమవరం దగ్గర పల్లెటూరు, సంక్రాంతికి కోడిపందేల బరి వేస్తే పుంజు ఎవరిదైనా, ఎవడు గెలిచినా ఎవడు ఓడినా, మూడో రోజు సాయంత్రానికి నవ్వుతూ ఇంటికెళ్ళేది బరి పక్కన కొట్టు పెట్టినోడే. 19వ శతాబ్దం ఇంగ్లండ్‌లో బ్రూవరీలు, అంటే బీరు తయారుచేసే కంపెనీలు, చేసింది కూడా సరిగ్గా అదే, కాకపోతే వాళ్ళు కొట్టు పెట్టి ఊరుకోలేదు, బరి ఉన్న నేలే కొనేశారు. కాబట్టి ఏ క్లబ్బు తీసుకున్నా మీరు అడగాల్సిన మొదటి ప్రశ్న ఒక్కటే, ఆ గ్రౌండు సైటు ఎవరి పేరు మీద ఉండేది. బెంగళూరులో సైట్ల గురించి మాట్లాడని తెలుగోడు లేడు కదా, మనకి ఇది వెన్నతో పెట్టిన విద్య.

కాస్త బ్యాక్‌గ్రౌండ్ తెలిస్తే తవ్వడం ఈజీ. 1830లో బీర్‌హౌస్ యాక్ట్ వచ్చాక రెండు గినీలు (పాత ఇంగ్లిష్ డబ్బు) ఫీజు కట్టి పన్ను కట్టే ఏ ఇంటాయనైనా బీరు కాసి అమ్ముకునే వీలొచ్చింది, ఊరూరా బీరు కొట్లు పుట్టుకొచ్చాయి. 1850 ఫ్యాక్టరీ చట్టంతో బట్టల మిల్లుల్లో ఆడవాళ్ళకీ కుర్రాళ్ళకీ శనివారం రెండింటికే పని ఆపేయాలి, తర్వాత తర్వాత మిగతావాళ్ళకీ ఆ ఒంటిపూట సెలవు పాకింది. చేతిలో వారం కూలి, ఖాళీ మధ్యాహ్నం, ఎక్కడికెళ్తారు? మ్యాచ్‌కి, మ్యాచ్ ముందూ తర్వాతా పబ్బుకి. ఇంకోటి, బ్రూవరీలు పబ్బుల్నే కొనేసి అందులో తమ బీరు మాత్రమే అమ్మించేవి. మన కిరాణా కొట్లకి కూల్‌డ్రింక్ కంపెనీ ఫ్రిజ్ ఇచ్చి ఇంకో కంపెనీ బాటిల్ పెట్టనివ్వదు చూడండి, ఆ లెక్క. అలా సొంత పబ్బు ఉన్న చోట పక్కనే జనం పోగయ్యే గ్రౌండు ఉంటే ఇంకేం కావాలి.

ఇప్పుడు పని మొదలెడదాం. క్లబ్బు చరిత్ర పేజీ కాదు, స్టేడియం చరిత్ర పేజీ తెరవండి. క్లబ్బు పేజీలో కప్పులూ గోల్సూ ఉంటాయి, స్టేడియం పేజీలో ఎవరి దగ్గర లీజుకి తీసుకున్నారు, అద్దె ఎంత, ఎందుకు ఖాళీ చేశారు అనేవి ఉంటాయి. ఓనర్, లీజు, అద్దె, హోటల్, ఈ నాలుగు మాటల కోసం వెతకండి చాలు.

లివర్‌పూల్ గ్రౌండు ఆన్‌ఫీల్డ్ తీసుకోండి, ఇంతకంటే మంచి ఉదాహరణ దొరకదు. అక్కడ ముందు ఆడింది లివర్‌పూల్ కాదు, ఎవర్టన్, 1884 నుంచి 1892 దాకా. ఎవర్టన్ పుట్టింది సెయింట్ డొమింగో అనే మెథడిస్ట్ చర్చిలో, మందుకి దూరంగా ఉండమనే క్రైస్తవ శాఖ అది. గ్రౌండు దగ్గర పెత్తనం చేసినాయన జాన్ హౌల్డింగ్, బీరు తయారీదారు, పక్కనే శాండన్ హోటల్ ఆయనదే, ఆటగాళ్ళు బట్టలు మార్చుకునేది కూడా అందులోనే. అంటే బట్టలు మార్చేది ఓనర్ హోటల్లో, ఆడేది ఓనర్ గ్రౌండులో, జనం తాగేది ఓనర్ బీరు. టీము బాగా ఆడ్డం మొదలెట్టాక అద్దె 100 పౌండ్ల నుంచి 250 పౌండ్లకి ఎక్కింది, ఇక్కడ బెంగళూరు బీటీఎం లేఅవుట్‌లో పదకొండో నెల రాగానే ఓనర్ అంకుల్ ఫోన్ చేస్తాడు చూడండి, అచ్చం ఆ ఫీలింగ్. గ్రౌండులో తినేవీ తాగేవీ అమ్ముకునే హక్కు తనకే ఉండాలని కూడా పట్టుబట్టాడు. చర్చిలో ఆర్గన్ వాయించే జార్జ్ మాన్ అనే ఆయన ముందుండి సభ్యుల్ని తిప్పాడు, 1892లో టీము మొత్తం మూటాముల్లె సర్దుకుని స్టాన్లీ పార్కుకి అటు పక్కన గూడిసన్ పార్కుకి పోయింది. హౌల్డింగ్‌కి గ్రౌండు మిగిలింది, ఆడేవాళ్ళు లేరు. ఎవర్టన్ పేరు తనకే ఉంచుకుందామని చూశాడు, కుదర్లేదు, అదే ఏడాది కొత్త టీము పెట్టాడు, దాని పేరే లివర్‌పూల్.

ఇక్కడ నేను చేసిన తప్పు మీరు చెయ్యొద్దు. "బీరు గొడవ వల్లే లివర్‌పూల్ పుట్టింది" అని నేను తెగ చెప్పేవాణ్ణి, ఒకరోజు పక్క టేబుల్ కుర్రాడు, అతనికి ఎవర్టన్ పిచ్చి, లేచొచ్చి "అన్నా, అద్దె సంగతేంటి, రాజకీయాల సంగతేంటి" అని గట్టిగా క్లాసు పీకాడు. కరెక్టే. హౌల్డింగ్ కన్సర్వేటివ్ పార్టీ మనిషి, అటువైపు లిబరల్ పార్టీ వాళ్ళు ఎక్కువ, పైగా క్లబ్బుని ఒక్కడే ఏలాలా అందరూ కలిసి నడపాలా అన్న పంచాయితీ. బీరు అందులో ఒక పాయ మాత్రమే. ఏదైనా ఒక్క కారణంతో తేలిపోయేలా కనిపిస్తే కాస్త అనుమానించండి.

స్టేడియం పేజీ అయ్యాక పాత మ్యాపు. ఇది నాకు అన్నిటికంటే ఇష్టమైన భాగం. స్కాట్లండ్ నేషనల్ లైబ్రరీ వెబ్‌సైట్లో ఇంగ్లండ్ పాత ఆర్డ్‌నెన్స్ సర్వే (అక్కడి ప్రభుత్వ సర్వే) మ్యాపులు ఫ్రీగా ఉంటాయి, ఒక పక్క పాతది, ఇంకో పక్క ఇప్పటి శాటిలైట్ ఫొటో పెట్టుకుని చూడొచ్చు. గ్రౌండు వెతికి చుట్టూ జూమ్ చెయ్యండి, పీ హెచ్ అనే రెండక్షరాలు కనిపిస్తే అది పబ్లిక్ హౌస్, బీ హెచ్ అయితే బీరు కొట్టు, పెద్ద బిల్డింగు మీద బ్రూవరీ అనే రాసుంటది. ఫోన్లో వద్దు, ల్యాప్‌టాప్‌లో చూడండి, చిన్న అక్షరాలకి కళ్ళు పోతాయి. న్యూకాసిల్ తీసుకుంటే వాళ్ళ గ్రౌండు సెయింట్ జేమ్స్ పార్కుకి కూతవేటు దూరంలో టైన్ బ్రూవరీ ఉండేది, 2005లో మూసేశారు, ఇప్పటి ఫొటోలో కనిపించదు, పాత మ్యాపులో ఉంటది. 1927లో వచ్చిన న్యూకాసిల్ బ్రౌన్ ఏల్ అనే బీరు బాటిల్ మీది నీలం చుక్క 1980ల్లో ఆ టీము చొక్కా మీదకి ఊరికే రాలేదు.

తర్వాత అడగాల్సింది బ్రూవరీకి ఆ నేలతో ఇంకేం చేసే ఛాన్సుంది అని. టాటెన్‌హమ్ టీము 1899లో వైట్ హార్ట్ లేన్ గ్రౌండుకి వెళ్ళినప్పుడు ఆ స్థలం చారింగ్టన్ అనే బ్రూవరీది, వాళ్ళు అక్కడ ఇళ్ళు కడదామనుకున్నారు. కానీ అక్కడి వైట్ హార్ట్ పబ్బు నడిపే ఆయన అంతకుముందు మిల్‌వాల్ అనే ఇంకో టీము గ్రౌండు దగ్గర పబ్బు నడిపి మ్యాచ్ రోజు గిరాకీ ఎలా ఉంటదో రుచి చూసినోడని చెప్తారు, ఇళ్ళకంటే ఫుట్‌బాలే మేలన్నాడట. వైట్‌ఫీల్డ్‌లో ఖాళీ సైటు చూసి అపార్ట్‌మెంటు కాకుండా గ్రౌండు వేద్దామనే ఓనర్‌ని ఒక్కణ్ణి చూపించండి, దండం పెడతా. వుల్వ్స్ టీము వాళ్ళ గ్రౌండు మోలినూ కూడా అంతే, 1889లో నార్తాంప్టన్ బ్రూవరీ కొని క్లబ్బుకి అద్దెకిచ్చింది. వాట్‌ఫర్డ్ 1922లో వికరేజ్ రోడ్డు గ్రౌండుకి మారింది బెన్‌స్కిన్స్ బ్రూవరీ అండతో.

మారుపేర్లు కూడా చూడండి. వాట్‌ఫర్డ్‌ని ఒకప్పుడు బ్రూవర్స్ అనేవాళ్ళు, ఇప్పుడు ఆ పేరు బర్టన్ ఆల్బియన్‌ది. బర్టన్ ఆన్ ట్రెంట్ అంటే అసలు ఇంగ్లండ్ బీరుకి పుట్టిల్లు లాంటి ఊరు, అక్కడి బావి నీళ్ళలో జిప్సమ్ ఎక్కువ, ఆ నీళ్ళకి లేత రంగు బీరు బాగా కుదిరింది, ఇండియాకి ఓడల్లో పంపిన ఇండియా పేల్ ఏల్‌తో ఆ ఊరి బ్రూవరీలు బాగా డబ్బు చేశాయి. విలియం బాస్ 1777లో పెట్టిన కంపెనీ అక్కడిదే, వాళ్ళ ఎర్ర త్రికోణం గుర్తు 1876లో బ్రిటన్‌లో రిజిస్టరైన మొట్టమొదటి ట్రేడ్‌మార్క్. ఇంత చరిత్రుండి ఆ బ్రూవర్స్ టీము ఆడేది పిరెల్లీ స్టేడియంలో, టైర్ల కంపెనీ పేరు!

కప్పుల పేర్లు ఒకసారి వరసగా రాసుకోండి, నవ్వొస్తుంది. ఇంగ్లండ్ లీగ్ కప్పు 1980ల్లో మిల్క్ కప్, అంటే పాల కప్పు, 1998 కల్లా వర్తింగ్టన్ కప్, అంటే బర్టన్ బీరు, 2003 నుంచి కార్లింగ్ కప్, అదీ బీరే. ప్రీమియర్ లీగే 1993 నుంచి 2001 దాకా కార్లింగ్ పేరు మీద నడిచింది. వాట్నీ కప్ అని బ్రూవరీ వాళ్ళు 1970 నుంచి 73 దాకా ఒక చిన్న టోర్నీ నడిపారు, ఎవరికీ గుర్తులేదు గానీ ఇంగ్లండ్‌లో మొదటి పెనాల్టీ షూటౌట్ జరిగింది అందులోనే, 1970 ఆగస్టులో హల్ సిటీ మీద మాంచెస్టర్ యునైటెడ్. మొదటి పెనాల్టీ కొట్టింది జార్జ్ బెస్ట్, మొదట మిస్సయింది డెనిస్ లా. గుర్రప్పందేల్లో విట్‌బ్రెడ్ అనే బ్రూవరీ పేరుతో విట్‌బ్రెడ్ గోల్డ్ కప్ 1957లోనే వచ్చింది, అదే కంపెనీ పేరుతో 1973లో పడవల్లో ప్రపంచం చుట్టే పోటీ.

చొక్కా ఆఖర్న చూడండి, అప్పుడు దానిక్కూడా ఒక అర్థం వస్తది. లివర్‌పూల్ మీద 1992 నుంచి 2010 దాకా కార్ల్స్‌బర్గ్ బీరు, అది సరే. చర్చిలో పుట్టి బీరు ఓనర్ మీద అలిగి వెళ్ళిపోయిన ఎవర్టన్ మీద 2004 నుంచి 2017 దాకా ఏముంది? చాంగ్ బీరు. నేల కథ తెలియకపోతే ఇందులో మజా లేదు.

ఇక కథలు చెక్ చేసుకోవడం. మాంచెస్టర్ యునైటెడ్‌ది కుక్క కథ. న్యూటన్ హీత్ అనే పేరుతో ఉన్నప్పుడు 1902కి 2,670 పౌండ్ల అప్పు, మూతబడే స్థితి. కెప్టెన్ హ్యారీ స్టాఫర్డ్‌కి మేజర్ అనే సెయింట్ బెర్నార్డ్ కుక్క, అది చందాల డబ్బాతో తిరుగుతూ తప్పిపోయి జాన్ హెన్రీ డేవిస్ అనే బ్రూవరీ యజమాని దగ్గర తేలింది, అలా పరిచయమై ఆయన క్లబ్బుని కొన్నాడు అని అంటారు. నేనైతే రెండుగా చీల్చుకుంటా. అప్పు, డేవిస్, 1902లో పేరు మార్పు, 1910లో ఆయన డబ్బుతో తెరిచిన ఓల్డ్ ట్రాఫర్డ్, ఇవి కాగితాల మీద ఉన్నవి. కుక్క ఎవరికి దొరికింది, డేవిస్ కూతురు ఆ కుక్క మీద ముచ్చటపడిందా లేదా అనేది ఒక్కో చోట ఒక్కోలా ఉంటది, కాబట్టి పబ్బులో చెప్పేటప్పుడు "అంట" తగిలించండి. ఓల్డ్ ట్రాఫర్డ్‌లో మొదటి మ్యాచ్ లివర్‌పూల్ మీదే, బీరు డబ్బు వర్సెస్ బీరు డబ్బు, యునైటెడ్ 4-3తో ఓడింది.

క్రికెట్ పిచ్చోళ్ళు కూడా ఇదే పద్ధతి వాడొచ్చు. ట్రెంట్ బ్రిడ్జ్ ఎలా పుట్టిందనుకున్నారు, విలియం క్లార్క్ అనే క్రికెటర్ ట్రెంట్ బ్రిడ్జ్ ఇన్ నడిపే మేరీ చాప్‌మన్‌ని పెళ్ళి చేసుకుని 1838లో ఆ పబ్బు వెనక ఖాళీ స్థలంలో గ్రౌండు వేశాడు. అల్లుడికి పొలం వచ్చినట్టు క్రికెటర్‌కి పబ్బు వచ్చింది. 2018లో కోహ్లీ టీము 203 పరుగులతో గెలిచింది ఆ నేల మీదే, ఆ పబ్బు ఇంకా పక్కనే ఉంది. ఇంకో తమాషా, 1985 చట్టం ప్రకారం ఇంగ్లండ్‌లో పెద్ద ఫుట్‌బాల్ మ్యాచుల్లో పిచ్ కనిపించే సీట్లో కూర్చుని బీరు తాగకూడదు, క్రికెట్‌కి ఆ రూలు లేదు. బీరు ఓనర్లు పెంచిన ఆటలోనే బీరు దాచుకుని తాగాలి.

ప్రాక్టీసుకి బెంగళూరే చాలు. యూబీ సిటీ అనే ఖరీదైన మాల్ ఉన్న చోట ఒకప్పుడు బ్రూవరీ ఉండేది, యునైటెడ్ బ్రూవరీస్‌ని 1915లో పెట్టింది థామస్ లీష్‌మన్ అనే స్కాట్లండ్ ఆయన, తర్వాత ఆ కంపెనీని నడిపిన విఠల్ మాల్యా పేరే ఆ రోడ్డుకి, విఠల్ మాల్యా రోడ్. అక్కణ్ణుంచి కంఠీరవ స్టేడియం నడిచే దూరం, ఇంకాస్త నడిస్తే చిన్నస్వామి క్రికెట్ స్టేడియం, అందులో ఆడే టీము పేరు ఒక విస్కీ బ్రాండు నుంచి వచ్చింది. ఇక్కడ మందు యాడ్ టీవీలో వెయ్యకూడదు కాబట్టి పేరు టీముకి ఎక్కింది, నేల మాత్రం మందు కంపెనీది కాదు, ఇంగ్లండ్‌కీ మనకీ తేడా అక్కడే. ఆదివారం పొద్దున్నే కబ్బన్ పార్క్ మెట్రోలో దిగి చిన్నస్వామి దగ్గర మొదలెట్టి పార్కులోంచి కంఠీరవ మీదుగా యూబీ సిటీకి రండి, ఎనిమిది లోపే వస్తే ట్రాఫిక్ ఉండదు, టిఫిన్ మాత్రం ముందే చేసి రండి, అటు వైపు ఇడ్లీ రేటు చూస్తే చరిత్ర మీద విరక్తి పుడుద్ది.