తెర అలసట నుంచి తేరుకోవడం - మూడో పాఠం: చూపును వదిలేయడం

గత పాఠంలో ఫోన్ ఇంట్లో పెట్టి బయటికి వెళ్లడం సాధన చేశాం. బయటికి వెళ్లాక ఏం చేయాలన్నది ఈ వారం పాఠం.

రోజంతా ల్యాప్‌టాప్ ముందు కూర్చున్నవాళ్లకు ఒళ్లు అలిసే పని ఉండదు. అయినా సాయంత్రానికి రెండు లైన్ల మెయిల్ రాయాలన్నా విసుగు, పిల్లలు రెండోసారి పిలిస్తే కోపం. ఒక పని మీద మనసు నిలవాలంటే మిగతా వాటన్నిటినీ పక్కకు నెడుతూ ఉండాలి: మోగే మెసేజ్‌లు, తెరిచి పెట్టిన ట్యాబ్‌లు, రేపటి డెడ్‌లైన్ టెన్షన్. అలిసిపోయేది ఆ నెట్టే శక్తే. ఆకుల కదలిక, మబ్బుల నడక మనసును బలవంతం లేకుండా పట్టి ఉంచుతాయనీ, అంతసేపూ ఆ శక్తి తేరుకుంటుందనీ మిషిగన్ విశ్వవిద్యాలయానికి చెందిన రేచల్ కాప్లాన్, స్టీఫెన్ కాప్లాన్ ప్రతిపాదించారు.

రీల్స్ కూడా కష్టపడకుండానే చూస్తాం కదా అని అడగవచ్చు. నిజమే. కానీ అవి మనసును పూర్తిగా ఆక్రమించేస్తాయి, సొంత ఆలోచనకు చోటు మిగలదు. చెట్టు ఆ చోటు వదులుతుంది.

ఏ చోటికి వెళ్తామన్నదీ ముఖ్యమే. 2008లో అదే విశ్వవిద్యాలయం పరిశోధకులు కొందరిని ఒక వారం చెట్ల తోటలో, మరో వారం నగర వీధుల్లో గంటకు కాస్త తక్కువసేపు నడిపించారు. విన్న అంకెలను చివరి నుంచి వెనక్కి చెప్పే పరీక్షలో, తోటలో నడిచాకే వాళ్లు బాగా మెరుగయ్యారు. మాదాపూర్ మెయిన్ రోడ్డు పక్కన నడిస్తే కాళ్లకు వ్యాయామమే తప్ప మనసుకు విరామం ఉండదు; బైకులను తప్పించుకోవడానికి మళ్లీ అదే శక్తి ఖర్చవుతుంది. అందుకే కేబీఆర్ పార్కు చుట్టూ ఉన్న ఫుట్‌పాత్ కన్నా లోపలి దారే మేలంటాను. కొండాపూర్ బొటానికల్ గార్డెన్, ఇందిరా పార్క్, ఉస్మానియా క్యాంపస్ చెట్ల నీడ, ఏది దగ్గరైతే అది. నైట్ షిఫ్ట్ వాళ్లు ఎండ తగ్గాక సాయంత్రం వెళ్లండి.

ఇక సాధన. బయల్దేరే ముందు ఇంట్లో ఎవరినైనా ఐదారు అంకెలు చదవమని, వెనక్కి చెప్పి చూడండి. ఎన్ని సరిగ్గా వచ్చాయో రాసుకోండి. పార్కులో మొదటి పది నిమిషాలు మామూలుగా నడవండి. చేయి జేబులోకి వెళ్తుంటుంది, వెళ్లనివ్వండి. తర్వాత ఒక వేపచెట్టు ముందో బండరాయి ముందో ఆగండి. ఇయర్‌ఫోన్లు వద్దు, అడుగుల లెక్క వద్దు, పిట్ట పేరేమిటా అన్న ఆరా కూడా వద్దు. కళ్లు ఎటు పోతే అటు పోనివ్వండి. ఆఫీసు గుర్తొస్తే దానితో పోట్లాడకండి, చూపును మళ్లీ కొమ్మల మీదికి తెచ్చుకుంటే చాలు. మధ్యమధ్యలో దూరంగా చూడండి. దగ్గరి తెర కోసం బిగిసి ఉండే కంటి కండరం అప్పుడు వదులవుతుంది.

మొదట్లో చాలామందికి బోర్ కొడుతుంది. ఆ బోర్ దాటకుండా వెనక్కి రావడం వల్లే ఈ సాధన సగంలో ఆగిపోతుంది. ఇంకాసేపు ఉండండి.

వారాల తరబడి నిద్ర పట్టకపోయినా, దేని మీదా ఆసక్తి లేకపోయినా నడకతో సరిపెట్టుకోకుండా డాక్టర్‌ను కలవండి.

తిరిగొచ్చాక కొత్త అంకెలతో మళ్లీ పరీక్షించుకుని రాసుకోండి. ఈ వారం వీలైనన్ని రోజులు చేసి, ఆ కాగితం దాచి ఉంచండి. పార్కుకు వెళ్లే తీరికే లేని రోజున బాల్కనీలో ఏం చేయాలో చెప్పే నాలుగో పాఠంలో దానితో పని ఉంది.