సిడ్ బారెట్ తరహా గిటారు, తెలుగు మాత్రలు: గోదావరి జిల్లాల్లో సెట్ చేసుకునే పద్ధతి

సిడ్ బారెట్ 1946 జనవరి 6న ఇంగ్లండులోని కేంబ్రిడ్జిలో పుట్టాడు. బొమ్మలు వేయడం నేర్చుకోడానికి లండన్ వెళ్ళి, రాక్ బ్యాండు పింక్ ఫ్లాయిడ్‌లో గిటారిస్టూ, ప్రధాన పాటల రచయితా అయ్యాడు. వాళ్ళ మొదటి ఆల్బమ్ 1967లో వచ్చింది. ఎల్‌ఎస్‌డీ అనే మత్తుమందు వాడకం, కుదేలైన మనసు మధ్య 1968 ఏప్రిల్‌కల్లా బ్యాండుకు దూరమయ్యాడు. 1970లో రెండు సోలో ఆల్బమ్‌లు, ఆ తర్వాత దాదాపు మౌనం. 2006 జూలై 7న పోయాడు. అతని నుంచి నేర్చుకోవలసినవి ముఖ్యంగా రెండు: తీగల మీద గొట్టం జారించే స్లైడ్ ధ్వనిని ఎకోలోకి పంపే తీరు, మాట పొడవును బట్టి తాళాన్ని సాగదీసే తీరు. వీటికి మత్తు అక్కర్లేదు, లెక్క కావాలి.

ముందు స్లైడ్. బారెట్ చాలాసార్లు జిప్పో లైటర్‌నే తీగల మీద జారించేవాడు. రాజమండ్రిలోనో, భీమవరంలోనో పైపుల కొట్టుకు వెళ్ళి మీ చిటికెన వేలికి సరిపడే స్టీలు పైపు ముక్క 6 సెంటీమీటర్లు కోయించుకున్నా సరిపోతుంది. అంచులు ఆకురాయితో గుండ్రంగా చేసి, 400, 800, 1200 నంబరు ఎమెరీ కాగితాలతో వరసగా రుద్దండి. గరుకు మిగిలితే ప్రతి జారుడులోనూ కీచుమంటుంది. తీగను నొక్కకూడదు, ఆనించాలంతే. స్లైడ్ సరిగ్గా ఫ్రెట్, అంటే గిటారు మెడ మీది అడ్డ కమ్మీ, పైన నిలవాలి. రెండు కమ్మీల మధ్య ఆపితే శ్రుతి తగ్గుతుంది. చూపుడు, మధ్య వేళ్ళు స్లైడ్ వెనక తీగల మీద తేలిగ్గా ఆన్చి ఉంచండి, లేకపోతే వెనక భాగం కూడా మోగి గోల అవుతుంది. తీగలు 10-46 సెట్టు (సన్న తీగ, లావు తీగ మందం, అంగుళంలో వెయ్యో వంతుల్లో) చాలు. 12వ ఫ్రెట్ దగ్గర తీగల ఎత్తు 2 మిల్లీమీటర్లకు తగ్గితే స్లైడ్ కమ్మీలకు తగిలి టకటకలాడుతుంది.

కలిపే వరస ఇది: గిటారు, ఫజ్ (ధ్వనిని బరకగా చేసే పెడల్), డిలే (ధ్వనిని కాస్త ఆగి మళ్ళీ వినిపించే ఎకో పెడల్), ఆంప్. ఫజ్‌ను డిలే తర్వాత పెడితే ఎకోలన్నీ కలిసి ముద్దవుతాయి. ఇక్కడి ఎండలకు జెర్మేనియం ఫజ్ కొనకండి. వేడి పెరిగేకొద్దీ ఆ ట్రాన్సిస్టర్లలో లీకేజీ కరెంటు పెరిగి బయాస్ (అవి పనిచేసే వోల్టేజీ స్థాయి) జరిగిపోతుంది. జనవరిలో నిండుగా పలికింది మే మధ్యాహ్నం తెగి తెగి పలుకుతుంది. సిలికాన్ ఫజ్ తీసుకోండి. పాత తరహా జెర్మేనియం ఫజ్ చాలావాటిలో పాజిటివ్ గ్రౌండు (ప్లస్ వైపే గ్రౌండుకు కలపడం) ఉంటుంది. ఇంట్లో అలాంటిది ఉంటే మిగతా పెడల్స్‌తో ఒకే అడాప్టర్‌కు కలపొద్దు, షార్ట్ అవుతుంది. దానికి విడిగా 9 వోల్టుల బ్యాటరీ పెట్టండి.

బారెట్ వాడింది బిన్సన్ ఎకోరెక్. టేపు బదులు తిరిగే అయస్కాంత డ్రమ్ము మీద ధ్వనిని రాసుకునే ఇటలీ యంత్రం. ఇప్పుడు మామూలు డిజిటల్ డిలేతో పని జరుగుతుంది. సమయం కట్టే సూత్రం: 30,000ను టెంపోతో, అంటే నిమిషానికి పడే బీట్లతో, భాగించండి. టెంపో 100 అయితే 300 మిల్లీసెకన్లు, అంటే అర బీటు. రిపీట్లు నాలుగైదు, మిక్స్ (ధ్వనిలో ఎకో పాలు) 35 నుంచి 40 శాతం. రేకుల షెడ్డులో వాయిస్తే రిపీట్లు రెండుకు తగ్గించండి, ఆ షెడ్డే మిగతాది ఇస్తుంది.

ఆ అర బీటును ఒక మాత్ర, అంటే ఛందస్సులో లఘువు పలికే కాలం, అనుకోండి; గురువుకు రెండు మాత్రలు. అసలు సంగతి ఇక్కడే ఉంది. ఉదాహరణకు:

రేవులో నావ నీడ తాగింది నీళ్ళు
గాలికి లంగరు వేసినదెవ్వరు

రెండో పాదం ఎనిమిది, ఎనిమిది మాత్రలు. నాలుగు బీట్ల తాళం చుట్టు ఒక బార్ కనుక రెండు బార్లలో చక్కగా పడుతుంది. మొదటి పాదంలో ‘రేవులో నావ’ ఎనిమిది, ‘నీడ తాగింది’ ఎనిమిది, ‘నీళ్ళు’ మూడు. ఆ మూడు మాత్రలను కోసేయాలని అందరికీ అనిపిస్తుంది. కోయకండి, మూడు మాత్రల పొట్టి బార్ ఒకటి అదనంగా వేయండి. బారెట్ పాటల్లో మాట కోసం బార్ ఇలాగే పెరుగుతుంది, తరుగుతుంది. డిలే ఒక్క మాత్ర దగ్గర ఉంది కనుక పొట్టి బార్‌లో కూడా ఎకో తప్పు చోట పడదు. అదే డిలేను 1200 మిల్లీసెకన్ల దగ్గర పెట్టి చూడండి, ‘నీళ్ళు’ దాటగానే ఎకో డ్రమ్ముకు అడ్డం పడుతుంది. డ్రమ్మరుకు కాగితం మీద 8, 8, 3 అని రాసివ్వండి. నోటితో చెబితే రెండోసారికి నాలుగు లెక్కన కొట్టేస్తారు.

కార్డులు (కలిపి మోగించే స్వరాల గుంపులు) ఎక్కువ అక్కర్లేదు. ఒకే మేజర్ కార్డు ఆకారాన్ని ఒక్కో ఫ్రెట్ కిందికి జరుపుతూ రండి.

కరెంటు సంగతి జాగ్రత్త. రాత్రిళ్ళు రొయ్యల చెరువుల దగ్గర ఏరేటర్ల మోటార్లు స్టార్టయ్యేటప్పుడు వోల్టేజీ దిగితే డిజిటల్ పెడల్ రీసెట్ కావచ్చు. స్క్వేర్ వేవ్ ఇన్వర్టర్ మీద నడిపితే సింగిల్ కాయిల్ పికప్ (తీగల కదలికను పట్టే ఒంటి తీగచుట్ట) బుయ్యిమంటుంది. అలాంటప్పుడు పెడల్స్ బ్యాటరీ మీద పెట్టి, గిటారు పట్టుకుని ఇన్వర్టర్‌కు దూరంగా జరిగి, హమ్ తగ్గే వైపు తిరిగి నిలబడండి. హమ్ పోతుందని ఆంప్ ప్లగ్గు ఎర్త్ పిన్ను మాత్రం ఎప్పుడూ విరగ్గొట్టకండి. తడి నేల మీద వట్టి కాళ్ళతో నిలబడి వాయిస్తే ప్రాణం మీదకొస్తుంది.

అంతర్వేది, ఉప్పాడ లాంటి తీర గ్రామాల్లో ఉప్పుగాలికి తీగలు త్వరగా తుప్పు పడతాయి. వాయించిన ప్రతిసారీ పాత నూలు పంచె ముక్కతో తీగ కింద నుంచి కూడా తుడవండి. కేసులో సిలికా జెల్ పొట్లాలు వేసి, రంగు మారగానే కొత్తవి పెట్టండి. వాల్యూమ్ తిప్పితే గరగరమంటే అందులో కాంటాక్ట్ క్లీనర్ ఒక చుక్క కొట్టి, ఇరవై సార్లు అటూ ఇటూ తిప్పండి. జాక్‌కూ అంతే, కేబుల్ పెట్టి తీస్తూ.