కాంపాక్ట్ ఎస్‌యూవీ కొనేముందు: వీల్‌బేస్ అంకె చదవడం, బండిలో కూర్చుని దాన్ని సరిచూసుకోవడం

ముందు చక్రం కేంద్రం నుంచి వెనక చక్రం కేంద్రం దాకా ఉండే దూరమే వీల్‌బేస్. బ్రోషర్ చివరి పేజీలో పొడవు, వెడల్పు, ఎత్తుల కింద చిన్న అక్షరాలతో ఉంటుంది. "వీల్‌బేస్ ఎక్కువండీ, లోపల హాయిగా ఉంటుంది" అని షోరూములో ఒక్క మాటలో తేల్చేస్తారు. అందులో సగం నిజం ఉంది. మిగతా సగం వెనక సీటు ఎక్కడ బిగించారు, టైరు ఎంత మందం, స్ప్రింగు ఎంత బిరుసు అన్నవాటి మీద ఆధారపడుతుంది.

ముందు అంకెలు చూద్దాం. నెక్సాన్ 2498 మి.మీ., బ్రెజా 2500, ఫ్రాంక్స్ 2520, కైలాక్ 2566, ఎక్స్‌యూవీ 3ఎక్స్ఓ 2600. ఇవన్నీ పన్ను లెక్క కోసం నాలుగు మీటర్ల లోపు కుదించిన బండ్లు. ఆపై తరగతిలో గ్రాండ్ విటారా 2600, 2024 క్రెటా 2610, ఎలివేట్ 2650, కుషాక్ 2651. ఈ జాబితాలో అన్నిటికన్నా పొట్టిదానికీ పొడుగుదానికీ తేడా 153 మి.మీ., అంటే జానెడు కూడా లేదు. శాతంలో చూస్తే ఆరు. కాబట్టి వీల్‌బేస్ ఒక్కటే కారణమైతే చాలా గుణాల్లో తేడా ఆ ఆరు శాతం చుట్టూనే ఉండాలి, వీల్‌బేస్ వర్గంతో పెరిగే కొన్నిటిలో సుమారు దానికి రెట్టింపు ఉండొచ్చు. రెండు బండ్ల మధ్య అంతకు మించిన తేడా కనిపిస్తే కారణం ఇంకెక్కడో ఉందన్నమాట.

కుదుపు వెనక సీటుకు ఎలా చేరుతుంది

గంటకు 60 కి.మీ. వేగంతో వెళ్తూ ఒక గతుకు మీదికి ఎక్కారనుకోండి. ముందు చక్రాలు దాటిన 0.15 సెకన్లకు నెక్సాన్ వెనక చక్రాలు అదే గతుకు ఎక్కుతాయి. కుషాక్‌కైతే 0.16 సెకన్లు పడుతుంది. ఆ కాస్త వ్యవధిలో ముందు భాగం లేచి, వెనక భాగం ఇంకా కిందే ఉంటుంది. బండి ముక్కు పైకెత్తి, ఆ వెంటనే దించుతుంది. ఈ ముందువెనకల ఊపునే పిచ్ అంటారు. 5 సెం.మీ. గతుకు మీద ముందు చక్రం లేస్తే, సస్పెన్షన్‌ను లెక్కలోకి తీసుకోకుండా చూస్తే, 2498 మి.మీ. బండి 1.15 డిగ్రీలు, 2651 మి.మీ. బండి 1.08 డిగ్రీలు వంగుతుంది. తేడా ఇక్కడా ఆరు శాతమే.

ఈ ఊపును చంపడానికి పాత ఉపాయం ఒకటుంది. 1930లలో జనరల్ మోటార్స్‌లో పనిచేసిన ఇంజినీరు మారిస్ ఓలీ దాన్ని సూత్రంగా చెప్పాడు. వెనక స్ప్రింగులు ముందు వాటికన్నా కాస్త వేగంగా ఊగేలా పెడితే, ఆలస్యంగా మొదలైన వెనక భాగం ముందు భాగాన్ని అందుకుంటుంది. ఒకటిన్నర ఊపుల్లో రెండూ కలిసి లేచి కలిసి దిగుతాయి. నిలువునా ఊగడాన్ని మెడ ఓర్చుకుంటుంది, ముక్కు ఎత్తి దించడాన్ని ఓర్చుకోదు.

చిక్కల్లా బరువు దగ్గరే. ఈ తరగతి బండ్లలో దాదాపు అన్నిటికీ వెనక టార్షన్ బీమ్, అంటే రెండు వెనక చక్రాలనూ కలిపే మెలితిరిగే ఉక్కు దూలం, దాని మీద స్ప్రింగులు ఉంటాయి. ఆ స్ప్రింగులు ఒక్క డ్రైవరున్నప్పుడూ పనిచేయాలి, ఐదుగురు ఎక్కి డిక్కీ నిండినప్పుడూ పనిచేయాలి. అందుకని కంపెనీలు వాటిని బిరుసుగా పెడతాయి. ఖాళీ బండి వెనక భాగం ఎగిరెగిరి పడటం, ఇద్దరు కూర్చోగానే సర్దుకోవడం అందుకే. వీల్‌బేస్ పొడుగైనా వెనక స్ప్రింగు బిరుసైతే ఖాళీగా నడిపేటప్పుడు సుఖం ఉండదు.

ఇంతకన్నా పెద్ద సంగతి వెనక సీటు ఉన్న చోటు. వెనక ఇరుసుకు సరిగ్గా పైన కూర్చున్నవాళ్లకు ఆ చక్రం కుదుపంతా తగులుతుంది, ముందుకు జరిగేకొద్దీ తగ్గుతుంది. 2500 మి.మీ. బండిలో నడుము ఇరుసుకు 30 సెం.మీ. ముందుంటే, వెనక చక్రం 5 సెం.మీ. లేచినప్పుడు మనిషి 4.4 సెం.మీ. లేస్తాడు. 2650 మి.మీ. బండిలో నడుము 45 సెం.మీ. ముందుంటే 4.15 సెం.మీ. లేస్తాడు. పొడుగు బండిలో కూడా సీటును వెనక్కి నెట్టి కాళ్ల దగ్గర జాగా చూపిస్తే ఈ లాభం పోతుంది. మోకాళ్ల జాగా, కుదుపు తగ్గడం రెండూ ఒకే వీల్‌బేస్‌లోంచి తీయాలి. కంపెనీ దేనికి ఎంత ఇచ్చిందో మీరే చూసుకోవాలి.

చూడటం తేలికే. వెనక తలుపు పూర్తిగా తెరిచి, దాని కింది వెనక మూల చూడండి. చక్రం గుండ్రం తలుపులోకి చొచ్చుకొచ్చి ఆ మూల ఏటవాలుగా కోసినట్టు ఉంటే సీటు ఇరుసుకు దగ్గరగా ఉందని అర్థం. ఎక్కేటప్పుడు పంచె గానీ చీర కుచ్చిళ్లు గానీ బురద టైరుకు అంటుకునేది ఆ మూల దగ్గరే. తలుపు అంచు దాదాపు నిలువుగా దిగితే సీటు ముందుకుంది. ఆ తర్వాత డ్రైవరు సీటు మీ ఎత్తుకు సర్ది, దాన్ని కదపకుండా వెనక కూర్చోండి. మోకాలికీ ముందు సీటుకూ మధ్య నాలుగు వేళ్లు నిలువుగా పడితే చాలు. అంతకు మించిన జాగా కోసం కుదుపుల సీటు తీసుకోవడం పెద్దవాళ్లున్న ఇంటికి నష్టం.

స్పీడ్ బ్రేకర్లు, ర్యాంపులు, కాలవ గట్లు

ఇండియన్ రోడ్స్ కాంగ్రెస్ కొలత ప్రకారం గుండ్రటి స్పీడ్ బ్రేకర్ 3.7 మీటర్ల వెడల్పు, 10 సెం.మీ. ఎత్తు, 17 మీటర్ల వ్యాసార్ధంతో ఉండాలి. అలాంటిదాని మీద నాలుగు చక్రాలూ ఒకేసారి నిలిస్తే, బండి కడుపు కింద నెక్సాన్‌కు 4.6 సెం.మీ., కుషాక్‌కు 5.2 సెం.మీ. జాగా తగ్గుతుంది. తేడా ఆరు మిల్లీమీటర్లు, దాని గురించి ఆలోచించనక్కర్లేదు. కాలనీల్లో అడుగు వెడల్పున, గట్టులా పోసిన బ్రేకర్లకు వీల్‌బేస్‌తో పనేలేదు, బండి ఎత్తే లెక్క.

వీల్‌బేస్ పట్టించుకోవాల్సింది దారి శిఖరంలా లేచి వంగే చోట్ల: సెల్లార్ ర్యాంపు పైకొచ్చి చదునైన చోట, గోదావరి డెల్టా ఊళ్లలో కాలవ గట్టు ఎక్కి దిగే చోట. ఇక్కడ గ్రౌండ్ క్లియరెన్స్‌ను, అంటే నేలకూ బండి కడుపుకూ మధ్య ఎత్తును, వీల్‌బేస్‌లో సగంతో భాగించి చూడాలి. వచ్చిన అంకె ఎంత పెద్దదైతే అంత మేలు. నెక్సాన్ 208 ÷ 1249 = 0.167. ఎలివేట్ 220 ÷ 1325 = 0.166. వీల్‌బేస్ 152 మి.మీ. ఎక్కువైనా ఎలివేట్ ఎత్తు వల్ల రెండూ సమానమయ్యాయి. కుషాక్ 188 ÷ 1325 = 0.142, అంటే ముందుగా అడుగు గీసుకునేది అదే. ఇది ఉజ్జాయింపే అయినా రెండు బండ్లను పోల్చడానికి సరిపోతుంది.

ఈ ఎత్తులు ఖాళీ బండివి. సమతలం మీద వెనక ఫెండర్ అంచు నుంచి నేల దాకా టేపుతో కొలవండి, కుటుంబమంతా ఎక్కి సామాను పెట్టాక మళ్లీ కొలవండి. దిగిన కొలతను బ్రోషర్ అంకెలోంచి తీసేస్తే మీకు మిగిలే అసలు ఎత్తు సుమారుగా తెలుస్తుంది.

మలుపు, పార్కింగ్

చక్రాలు ఒకే కోణంలో తిరిగితే పొడుగు బండికి పెద్ద వలయం కావాలి. కానీ చక్రం ఎంత తిరుగుతుందో కంపెనీ చేతిలో ఉంది. ఎలివేట్ 2650 మి.మీ.తో 5.2 మీటర్ల వ్యాసార్ధంలో తిరుగుతుంది, గ్రాండ్ విటారా 2600 మి.మీ.తో 5.4 మీటర్లు తీసుకుంటుంది. యూ-టర్న్‌లో అది 40 సెం.మీ. తేడా. బంపర్ మూల దీనికన్నా ఇంకాస్త బయటికి వెళ్తుందని గుర్తుంచుకోండి.

వీల్‌బేస్ పెరిగితే తప్పనిసరిగా పెరిగేది వెనక చక్రం లోపలికి కోసే దూరం. 5.2 మీటర్ల మలుపులో 2500 మి.మీ. బండి వెనక చక్రం ముందుదానికన్నా 64 సెం.మీ. లోపలగా వస్తుంది, 2650 మి.మీ. బండిది 73 సెం.మీ. చిన్న హ్యాచ్‌బ్యాక్ నుంచి మారినవాళ్లు మొదటి నెలలో వెనక తలుపును సెల్లార్ స్తంభానికి రాసేది ఇందుకే. మీ భుజం స్తంభం దాటేదాకా స్టీరింగ్ పూర్తిగా తిప్పకండి.

హైవే, ఘాట్ రోడ్డు, బ్రేకులు

పొట్టి వీల్‌బేస్ బండి స్టీరింగ్ కదిపిన వెంటనే తిరుగుతుంది. తిరుమల కొండ దిగే పాత ఘాట్ రోడ్డు మలుపుల్లో అది హాయి. ఔటర్ రింగ్ రోడ్డు మీద వంద దాటాక, పక్కనుంచి లారీ గాలి తోసినప్పుడు అదే చురుకుదనం చిన్న చిన్న దిద్దుబాట్లు అడుగుతుంది. రెండు గంటల హైవే ప్రయాణం తర్వాత భుజాలు పట్టేసేది ఆ దిద్దుబాట్ల వల్లే. ఎక్కువగా ఊళ్ల మధ్య తిరిగేవాళ్లు ఇక్కడ పొడుగు బండికి మార్కులు వేయాలి.

బ్రేకు విషయంలో తేడా తక్కువ. మనుషులతో 1500 కిలోలున్న బండి, బరువు కేంద్రం 60 సెం.మీ. ఎత్తులో ఉంటే, గట్టిగా (0.8 జీ, అంటే గురుత్వ త్వరణంలో 80 శాతం) బ్రేకు వేసినప్పుడు 2.5 మీటర్ల వీల్‌బేస్‌లో 288 కిలోలు ముందుకు మారతాయి, 2.65 మీటర్లలో 272. మధ్యలో తేడా పాతిక కిలోల బియ్యం బస్తా కూడా కాదు. ముక్కు బాగా దిగబడితే ముందు స్ప్రింగులు, షాక్ అబ్జార్బర్ల మీద అనుమానపడండి.

సిమెంటు రోడ్డుది వేరే కథ. పలకల అతుకులు సాధారణంగా 4.5 మీటర్లకొకటి ఉంటాయి. అతుకుల మధ్య దూరం వీల్‌బేస్‌కు రెట్టింపుకు దగ్గరైతే ముందు లేచినప్పుడు వెనక దిగి, పిచ్ ఎక్కువవుతుంది. 2.5 మీటర్ల బండికి ఆ రెట్టింపు 5 మీటర్లు, 2.65 దానికి 5.3. పొట్టి బండి ఆ ఇబ్బందికి కాస్త దగ్గరగా ఉంటుంది. మీరు రోజూ తిరిగే దారి సిమెంటుదైతే టెస్ట్ డ్రైవ్ అక్కడే అడగండి.

టెస్ట్ డ్రైవ్ ఎలా చేయాలి

బయల్దేరే ముందు టైర్లలో గాలి చూడండి. యార్డులో నిలిపిన బండ్లకు గాలి ఎక్కువ పెట్టి ఉంచుతారు, తగ్గించకుండా టెస్ట్ డ్రైవ్‌కు ఇచ్చేస్తే మంచి బండి కూడా రాయిలా తగులుతుంది. డ్రైవరు తలుపు తెరిస్తే స్తంభం మీద స్టిక్కర్ ఉంటుంది, అందులో ఉన్నంతే గాలి ఉండాలి. పోల్చే బండ్లన్నిటికీ ఇలాగే చేయండి.

ఇద్దరిని వెనక కూర్చోబెట్టండి. డ్రైవరు సీటు రెండు ఇరుసులకూ నడుమ ఉంటుంది కాబట్టి పిచ్ అక్కడ తక్కువగా తెలుస్తుంది. చాలామంది మోసపోయేది ఇక్కడే. కారు ఎక్కితే కడుపులో తిప్పే మనిషి ఇంట్లో ఉంటే వాళ్లనే తీసుకెళ్లండి, వాళ్ల మాటకు మించిన కొలమానం లేదు. తర్వాత సేల్స్ మనిషికి స్టీరింగ్ ఇచ్చి మీరు వెనక కూర్చోండి.

గతుకుల రోడ్డు మీద 30, ఆపై 50 కి.మీ. వేగంతో వెళ్తూ ముందు కూర్చున్నవాళ్ల తలలు గమనించండి. తల ముందుకూ వెనక్కూ ఊగితే అది పిచ్, వీల్‌బేస్‌కూ స్ప్రింగుల పొత్తుకూ సంబంధించింది. నిలువునా ఎగిరితే బిరుసు స్ప్రింగు గానీ పలచటి టైరు గానీ కారణం. పక్కలకు కొట్టుకుంటే బండి వెడల్పు, ఎత్తు, యాంటీ-రోల్ బార్ (బండి పక్కకు ఒరగకుండా ఆపే కడ్డీ) చూడాలి. వీల్‌బేస్‌ను నిందించి లాభం లేదు. స్పీడ్ బ్రేకర్‌ను 20 కి.మీ.తో దాటి, వెనక భాగం ఎన్నిసార్లు ఊగిందో లెక్కపెట్టండి. ఒకసారి లేచి దిగి ఆగాలి. రెండోసారి కూడా ఊగితే షాక్ అబ్జార్బర్ మెత్తబడింది.

వేరియంట్ కూడా అడగండి. కుషాక్‌లో 205/60 ఆర్16 టైరు పక్కగోడ 123 మి.మీ., 205/55 ఆర్17కు 113 మి.మీ. అందం కోసం పోయిన ఆ సెంటీమీటరు రబ్బరు నగర గుంతల్లో వంద మిల్లీమీటర్ల వీల్‌బేస్ కన్నా ఎక్కువగా తెలుస్తుంది. పై వేరియంట్ నడిపించి కింది వేరియంట్ అమ్మినా, అటుదిటైనా, మీరు పరీక్షించింది వేరే బండే.

పాత బండి కొంటుంటే

వీల్‌బేస్‌ను రెండు వైపులా కొలవండి, యాక్సిడెంట్ అయిన బండి కొంతవరకు ఇక్కడే బయటపడుతుంది. చదునైన సిమెంటు నేల మీద స్టీరింగ్ నిటారుగా పెట్టి, బండిని రెండు మూడు మీటర్లు ముందుకు తోసి ఆపండి, వెనక్కి కదపకండి. ప్రతి చక్రం కేంద్రం నుంచి దారానికి నట్టు కట్టి వేలాడదీసి, నేల మీద సుద్దతో గుర్తు పెట్టండి. ఉక్కు టేపుతో ముందు గుర్తు నుంచి వెనక గుర్తుకు కొలవండి. మూడు నాలుగు మి.మీ. తేడా కొలతలో పొరపాటు కావచ్చు. 10 మి.మీ. దాటితే కంప్యూటర్ అలైన్‌మెంట్ షీటు తీయించి, లోయర్ ఆర్మ్, సబ్‌ఫ్రేమ్, వెనక బీమ్ బుష్‌లు చూపించండి. పూర్వం రెనో 4 లాంటి కార్లకు కుడి ఎడమ వీల్‌బేస్ కావాలనే 48 మి.మీ. తేడాతో చేశారు గానీ, పైన చెప్పిన బండ్లలో ఏదానికీ అలాంటి తేడా లేదు.

ఉన్న బండినే మెరుగుపరచుకోవాలంటే

వీల్‌బేస్ మార్చలేం, దాని చుట్టూ ఉన్నవి మార్చగలం. బరువైన పెట్టె డిక్కీలో వెనక తలుపుకు ఆనించకుండా సీటు వీపుకు ఆనించి పెట్టండి. 60 కిలోలు వెనక ఇరుసుకు 70 సెం.మీ. వెనక ఉంటే ముందు చక్రాల మీద 17 కిలోల బరువు తగ్గుతుంది. స్టీరింగ్ తేలిపోవడం, హెడ్‌లైట్లు ఆకాశం చూడటం అక్కడ మొదలవుతాయి. నిండు బరువుకు స్టిక్కర్ మీద వేరే గాలి కొలత ఉంటుంది, ఊరెళ్లేముందు అంత పెట్టించి, తిరిగొచ్చాక తగ్గించండి.

స్ప్రింగు చుట్ల మధ్య ఇరికించే రబ్బరు బఫర్లు పెట్టించకండి. అవి ఒక్కో చుట్టును పనిచేయకుండా ఆపి వెనక స్ప్రింగును ఇంకా బిరుసు చేస్తాయి. బండి కొంచెం ఎత్తు పెరుగుతుంది, ఖాళీగా ఉన్నప్పుడు వెనక సీటు ఎగిరి పడటమూ పెరుగుతుంది. అడుగు తగులుతుందని వాటికోసం వెళ్లేవాళ్లు మొదట వెనక షాక్ అబ్జార్బర్ల మీద నూనె చెమ్మ ఉందేమో చూపించండి. కారుతుంటే ఇరుసుకు రెండూ కలిపి, జతగా మార్పించండి.