ఇంగ్లండులోని ఒక బాయ్స్ కాంప్రిహెన్సివ్ స్కూలు చరిత్ర రాయాలంటే

మొదట చేయాల్సిన పని, స్కూలు బోర్డు మీద ‘స్థాపితం’ అని ఉన్న సంవత్సరాన్ని పక్కన పెట్టడం. అది పాత గ్రామర్ స్కూలు (పరీక్ష పెట్టి పిల్లల్ని ఎంచుకునే స్కూలు) పుట్టిన ఏడాది కావచ్చు, బిల్డింగ్ కట్టిన ఏడాది కావచ్చు, ఏదో స్వర్ణోత్సవం నాడు ఎవరో తేల్చేసిన ఏడాదీ కావచ్చు. ఇంగ్లండులో బాయ్స్ కాంప్రిహెన్సివ్ (ప్రవేశ పరీక్ష లేకుండా మగపిల్లల్ని చేర్చుకునే సెకండరీ స్కూలు) చాలాచోట్ల ఒకటే స్కూలుగా పుట్టలేదు. ఒక గ్రామర్ స్కూలూ ఒకటో రెండో సెకండరీ మోడర్న్ స్కూళ్లూ (గ్రామర్‌లో చోటు రాని పిల్లలు చదివేవి) కలిస్తే వచ్చింది. కాబట్టి రాయడానికి ముందు ఒక పట్టిక గీయండి: తేదీ, అప్పటి పేరు, స్కూలు రకం, నడిపిన స్థానిక కౌన్సిల్, బిల్డింగ్, హెడ్‌మాస్టర్. తెలియని గడి ఖాళీగానే వదలండి, ఊహతో నింపితే తర్వాత మీరే దాన్ని నిజమనుకుంటారు.

ఆ పట్టికకు కొన్ని తేదీలు మేకుల్లా పనికొస్తాయి. 1944 చట్టం తర్వాత ప్రభుత్వ సెకండరీ స్కూళ్లలో ఫీజులు పోయాయి, పదకొండేళ్ల వయసులో రాసే లెవన్ ప్లస్ పరీక్షతో పిల్లల్ని గ్రామర్‌కో సెకండరీ మోడర్న్‌కో పంపారు. చదువు మానే కనీస వయసు 1947లో 15కి, 1972లో 16కి పెరిగింది. విద్యామంత్రి ఆంథొనీ క్రాస్‌లాండ్ 1965 జులైలో ఇచ్చిన సర్క్యులర్ 10/65, కాంప్రిహెన్సివ్ పద్ధతికి ప్రణాళికలు పంపమని కౌన్సిళ్లను కోరింది. కోరింది, అంతే. ఆదేశించలేదు. 1970లో అప్పటి విద్యామంత్రి మార్గరెట్ థాచర్ సర్క్యులర్ 10/70తో దాన్ని వెనక్కి తీసుకున్నారు. అందుకే ‘1965లో ప్రభుత్వ ఆజ్ఞతో మా స్కూలు మారింది’ అన్న వాక్యం దాదాపు ఎప్పుడూ తప్పే. కొన్ని కౌన్సిళ్లు అంతకు ముందే మొదలుపెట్టాయి: లండన్‌లో మగపిల్లల టల్స్ హిల్ స్కూలు కాంప్రిహెన్సివ్‌గానే 1956లో తెరుచుకుంది. కొన్ని కౌన్సిళ్లయితే ఇప్పటికీ గ్రామర్ స్కూళ్లను వదల్లేదు.

ఎక్కువమంది తడబడే చోటు ఇంకొకటుంది. ‘1971లో కాంప్రిహెన్సివ్ అయింది’ అంటే చాలాచోట్ల అర్థం, ఆ సెప్టెంబరులో మొదటి ఏడాదిలో చేరినవాళ్లు మాత్రమే పరీక్ష లేకుండా వచ్చారని. 1970లో లెవన్ ప్లస్ పాసై చేరిన కుర్రాళ్లు 1975 వేసవిలో ఓ లెవెల్ (పదహారేళ్లకు రాసే పరీక్ష) రాశారు, సిక్స్త్ ఫారంలో (ఆ తర్వాతి రెండేళ్ల చదువు) ఉన్నవాళ్లు 1977 దాకా అక్కడే ఉన్నారు. అంటే ఆరేళ్లపాటు ఒకే కప్పు కింద రెండు స్కూళ్లు నడిచాయన్నమాట. ‘కాంప్రిహెన్సివ్ కాగానే ఫలితాలు పడిపోయాయి’ అనో ‘పెరిగాయి’ అనో రాసేముందు, ఆ ఏడాది పరీక్ష రాసింది ఏ బ్యాచో లెక్కగట్టండి. 1965లో ఓ లెవెల్ పక్కనే సీఎస్ఈ అనే పరీక్ష వచ్చింది, ఆ రెండింటి బదులు తెచ్చిన జీసీఎస్ఈ మొదటి పరీక్షలు 1988లో జరిగాయి. ఈ మూడింటి అంకెల్నీ ఒకే గ్రాఫులో పెట్టకూడదు.

రికార్డులు ఎక్కడున్నాయో తెలియాలంటే ఆ కాలంలో స్కూలును నడిపిన కౌన్సిల్ పేరు తెలియాలి. మిడిల్‌సెక్స్ కౌంటీ 1965లో పోయింది, దాని కాగితాలు లండన్ ఆర్కైవ్స్‌లో ఉంటాయి. లోపలి లండన్ స్కూళ్లను నడిపిన విద్యాసంస్థ ఇల్యా (ILEA) 1990లో రద్దయింది, దానివీ అక్కడే. 1974లో కౌంటీల సరిహద్దులు మారినచోట ఇప్పటి కౌన్సిల్‌ను అడిగితే ‘మా దగ్గర లేవు’ అనే జవాబే వస్తుంది. వెస్ట్ రైడింగ్ విద్యాశాఖ కాగితాల కోసం వేక్‌ఫీల్డ్ వెళ్లాలి. లండన్‌లోని క్యూ (Kew) అనే చోట ఉన్న నేషనల్ ఆర్కైవ్స్‌లో ఈడీ 35 (ED, అంటే విద్యాశాఖ) వరుసలో పాత సెకండరీ స్కూళ్ల ఫైళ్లు, ఈడీ 109లో ఇన్‌స్పెక్టర్ల రిపోర్టులు దొరుకుతాయి. స్కూలు పేరుతో పాటు ఊరి పేరుతో, పాత కౌంటీ పేరుతో కూడా వెతకండి.

గ్రామర్ స్కూలుకు పత్రిక ఉంటుంది, గౌరవ ఫలకాలుంటాయి, ఓల్డ్ బాయ్స్ సంఘం ఉంటుంది. సెకండరీ మోడర్న్‌కు అవి తక్కువ. అందుకే అచ్చయిన చరిత్రల్లో గ్రామర్ రోజులు పుస్తకం నిండా పరుచుకుని, అంతకంటే ఎక్కువమంది చదివిన స్కూలు రెండు పేజీల్లో ముగిసిపోతుంది. ఇది కాగితాల కొరత కంటే ఎక్కువగా రాసేవాళ్ల బద్ధకం. సెకండరీ మోడర్న్ పాత ఎలిమెంటరీ స్కూలు నుంచి వచ్చి ఉంటే హెడ్‌మాస్టర్ రాసిన లాగ్ బుక్ ఉండే అవకాశం ఉంది. 1862 నుంచే ప్రభుత్వ గ్రాంటు తీసుకునే ఎలిమెంటరీ స్కూళ్లకు అది తప్పనిసరి. శిక్షల పుస్తకం దొరికితే ఓపిగ్గా చదవండి. తేదీ, కుర్రాడి పేరు, తప్పు, ఎన్ని దెబ్బలు, కొట్టిందెవరు అని వరుసగా ఉంటాయి. పేర్లు వదిలేసి నెలల వారీగా లెక్కేస్తే ఏ మాస్టారు చేతిలో బెత్తం ఎక్కువ ఆడిందో, ఎప్పుడు తగ్గిందో తెలిసిపోతుంది. అయితే నమోదు కాని దెబ్బలూ ఉంటాయి, కాబట్టి ఖాళీ పేజీని శాంతికాలం అనుకోవద్దు. ఇంగ్లండు ప్రభుత్వ స్కూళ్లలో బెత్తాన్ని చట్టం 1987లో ఆపేసింది.

ఫొటోల తేదీకి వెనకున్న షెడ్లు చూడండి. చదువు మానే వయసు పెంచిన 1947 మార్పు కోసం వేసిన కాంక్రీటు హోర్సా హట్లు, 1972 మార్పు కోసం కట్టిన రోస్లా బ్లాకులు కనిపిస్తే ‘ఇంతకు ముందు కాదు’ అని చెప్పొచ్చు. పొడవాటి స్కూలు గ్రూప్ ఫొటోలు తిరిగే కెమెరాతో తీసినవి. ఒక చివర నిలబడ్డ కుర్రాడు వెనక నుంచి పరిగెత్తి రెండో చివరా కనిపించడం మామూలే, తలలు లెక్కపెట్టి విద్యార్థుల సంఖ్య రాయొద్దు. ఏళ్ల తరబడి చుట్టి ఉంచిన ఫొటోను బలవంతంగా విప్పితే పైపొర పగులుతుంది. దాన్ని ఆర్కైవ్ సిబ్బందికే వదలండి.

పాత విద్యార్థులతో మాట్లాడేటప్పుడు గ్రామర్ వాళ్లే ముందుకొస్తారు. మధ్యలో చదువు మానినవాళ్లను వెతికి పట్టుకోండి. రికార్డు చేసే ముందే రాతపూర్వక అనుమతి తీసుకోండి. బతికున్నవారి వివరాలకు డేటా రక్షణ చట్టం వర్తిస్తుంది, అందుకే అడ్మిషన్ రిజిస్టర్లలో ఇటీవలి భాగాలు చూపించరు.

చివరి దశాబ్దాలు తేలిగ్గా కనిపిస్తాయి గానీ అక్కడా ఒక చిక్కుంది. అకాడమీగా (కౌన్సిల్ చేతి నుంచి బయటికొచ్చి నేరుగా కేంద్ర ప్రభుత్వ నిధులతో నడిచే స్కూలుగా) మారిన స్కూలుకు కొత్త యూఆర్ఎన్ నంబరు (ప్రభుత్వం ప్రతి స్కూలుకూ ఇచ్చే గుర్తింపు సంఖ్య) వస్తుంది, ప్రభుత్వ జాబితాలో పాతది ‘మూసివేశారు’ అని కనబడుతుంది. స్కూళ్లను తనిఖీ చేసే సంస్థ ఆఫ్‌స్టెడ్ ఇచ్చిన పాత రిపోర్టులు ఆ పాత నంబరు కిందే వెతకాలి. స్కూలు దగ్గరున్న ఇతర సమాచారాన్ని సమాచార హక్కు కింద అడిగితే 20 బడి రోజులు, 60 పనిదినాలు, వీటిలో ఏది ముందైతే ఆలోపు జవాబివ్వాలి. వేసవి సెలవులకు ముందు అడగకండి, జవాబు శరదృతువుకు జారిపోతుంది.

అచ్చుకు వెళ్లేముందు పేర్ల సూచిక చేయండి. కొనేవాళ్లు మొదట తిప్పేది ఆ పేజీలే. ఒక ప్రతి, మీ నోట్సుతో సహా, జిల్లా రికార్డు ఆఫీసుకు ఇవ్వండి.